సర్కారు కొలువు దరఖాస్తు రిజెక్ట్ అయిందా? అపోహలు - వాస్తవాలు

మాది నల్లగొండ. హైకోర్టులో సర్వీసు కేసులు చూస్తాను. నోటిఫికేషన్ పడిన ప్రతిసారీ దేవరకొండ నుంచో మక్తల్ నుంచో "సార్, అప్లికేషన్ రిజెక్ట్ చేసిండ్రు" అని ఫోన్లు మొదలవుతాయి. అప్పటికే చాలామంది ఎవరెవరి మాటలో నమ్మి, చేతిలో ఉన్న కొద్ది రోజులూ పోగొట్టుకుని ఉంటారు. ఆ బాధ చూడలేకే ఇది రాస్తున్నాను.

అపోహ: సబ్మిట్ కొట్టాక తప్పు మనదే, కోర్టు వినదు.

వాస్తవం: అది ఎలాంటి తప్పు అన్నదే అసలు ప్రశ్న. బిహార్ కానిస్టేబుల్ నియామకాల్లో ఒక అభ్యర్థి దరఖాస్తును ఇంటర్నెట్ సెంటర్‌లో నింపించుకున్నాడు. పుట్టిన తేదీ 18కి బదులు 8 అని పడింది. పరీక్షలు పాసయ్యాక, సర్టిఫికెట్‌తో తేదీ కలవలేదని పక్కన పెట్టారు. ఏ తేదీ చూసినా అతనికి వయసు సరిపోతుంది, ఆ తప్పుతో అతనికి ఒరిగిందీ ఏమీ లేదు. 2024 జనవరిలో సుప్రీంకోర్టు అది చిన్న పొరపాటేనని చెప్పి అతనికి న్యాయం చేసింది.

అలాగని ప్రతి తప్పుకూ ఈ తీర్పు పనికిరాదు. మన దగ్గర తరచూ వచ్చే చిక్కు చూడండి. నారాయణపేట 2019 ఫిబ్రవరిలో వేరే జిల్లా అయింది. అంతకుముందు మక్తల్‌లో ఒకటి నుంచి ఏడు దాకా చదివిన (స్థానికుడా కాదా అన్నది ఈ తరగతులతోనే తేలుస్తారు) అబ్బాయి పాత స్టడీ సర్టిఫికెట్‌లో మహబూబ్‌నగర్ జిల్లా అనే ఉంటుంది. అది చూసి దరఖాస్తులోనూ మహబూబ్‌నగరే నొక్కుతాడు. జోనల్ పోస్టయితే, అంటే కొన్ని జిల్లాలను కలిపిన జోన్ మొత్తానికి నింపే పోస్టయితే, రెండు జిల్లాలూ జోగులాంబ జోన్‌లోనే ఉన్నాయి కాబట్టి ఎవరికీ నష్టం లేదని గట్టిగా వాదించవచ్చు. జిల్లా క్యాడర్ పోస్టయితే, అంటే ఒక్క జిల్లాకే నింపే పోస్టయితే, లెక్క వేరు. అక్కడ 95 శాతం పోస్టులు స్థానికులవి. తప్పు జిల్లాలో లెక్కేస్తే ఇంకొకరి అవకాశం పోతుంది కాబట్టి కోర్టును ఒప్పించడం కష్టం.

అపోహ: సర్టిఫికెట్ల వెరిఫికేషన్ రోజుకు డిగ్రీ చేతిలో ఉంటే చాలు.

వాస్తవం: చాలదు. నోటిఫికేషన్‌లో వేరే తేదీ చెప్పకపోతే, దరఖాస్తుల చివరి తేదీకే అర్హత ఉండాలి. రిజర్వేషన్ సర్టిఫికెట్ల విషయంలో 2016లో సుప్రీంకోర్టు, గడువు దాటాక సర్టిఫికెట్ ఇచ్చిన ఒక ఓబీసీ అభ్యర్థికి ఊరటనిచ్చింది. చాలామంది ఆ ఒక్క తీర్పునే పట్టుకుని వస్తారు. 2023లో యూపీఎస్సీ ఈడబ్ల్యూఎస్ (ఆర్థికంగా వెనుకబడినవాళ్ల కోటా) కేసులో అదే కోర్టు గడువు గడువేనంది.

అపోహ: ముందు పరీక్ష కానీ, తర్వాత చూద్దాం.

వాస్తవం: నిలబడాల్సిన కేసులు ఎక్కువగా ఇక్కడే పోతున్నాయి. పరీక్షకు ముందే వస్తే, తాత్కాలికంగా రాయనివ్వాలని మధ్యంతర ఉత్తర్వు (కేసు తేలేదాకా నడిచే ఆదేశం) అడగవచ్చు. నియామకాలు అయిపోయాక వస్తే ఎంపికైనవాళ్లనూ ప్రతివాదులుగా చేర్చాలి. ఉద్యోగంలో చేరిపోయినవాళ్లను కదిలించడానికి ఏ జడ్జీ అంత తేలిగ్గా ఒప్పుకోరు.

రిజెక్ట్ అని తెలిసిన రోజే ఆ పేజీ స్క్రీన్‌షాట్ తీయండి. దరఖాస్తు పీడీఎఫ్, ఫీజు రసీదు దాచండి. నోటిఫికేషన్ ఇచ్చిన సంస్థకు వినతిపత్రం ఈమెయిల్‌లోనూ రిజిస్టర్డ్ పోస్టులోనూ పంపి, తిరస్కరణకు కారణం రాతపూర్వకంగా అడగండి. ఉత్తర్వులో లేని కారణాన్ని తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి కొత్తగా చేర్చడం కుదరదని సుప్రీంకోర్టు 1978లోనే చెప్పింది. అందుకే ఆ కాగితం మీకు ఆయుధం. ఆర్టీఐ (సమాచార హక్కు) దరఖాస్తు కూడా వేయండి, కానీ జవాబుకు 30 రోజుల గడువుంటుంది. దానికోసం కేసు ఆపుకోవద్దు.

అపోహ: నల్లగొండ కోర్టులోనే వేసుకోవచ్చు, గెలిస్తే ఉద్యోగం వచ్చినట్టే.

వాస్తవం: రెండూ కాదు. రాష్ట్ర ఉద్యోగాలకు రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేయాలి. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగాలకు ముందు హైదరాబాద్‌లోని క్యాట్ (కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్) బెంచ్‌కు వెళ్లాలి. గెలిచినా చాలాసార్లు దక్కేది మీ దరఖాస్తును పరిశీలించమనే ఆదేశమే. మెరిట్‌లో మీరే నిలవాలి.

అపోహ: హైకోర్టు డబ్బున్నవాళ్లకే.

వాస్తవం: 1987 న్యాయసేవల చట్టం ప్రకారం మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయర్‌ను ఇస్తారు. తండాల నుంచి వచ్చే ఆడపిల్లలు ఈ సంగతి తెలియక అప్పులు చేస్తుంటే నాకు చాలా బాధేస్తుంది. మీ జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయసేవాధికార సంస్థకు కుల ధ్రువపత్రం, దరఖాస్తు కాపీ, తిరస్కరణ పేజీ పట్టుకెళ్లి, హైకోర్టులో రిట్ వేయాలని అడగండి. పరీక్ష తేదీ ఎప్పుడో ముందే చెప్పండి.