డాక్టర్ గారు రాగానే గేదె ఎందుకు మామూలుగా అయిపోతుంది?

ఒక పాడి రైతు అడిగిన ప్రశ్న ఇది: "నిన్నటి నుంచి గేదె మేత ముట్టట్లేదండి, మూలకి పోయి తల వాల్చుకుని నిలబడుతోంది, తీరా డాక్టర్ గారు వచ్చేసరికి తలెత్తి చెవులు రిక్కించి ఏమీ లేనట్టే చూస్తది, ఎందుకంటారు?" కుక్కల్ని, పిల్లుల్ని పెంచుకునేవాళ్లూ ఇదే చెబుతారు, ఇంట్లో కుంటుతూ తిరిగిన కుక్క క్లినిక్‌లో నాలుగు కాళ్లూ సమంగా వేసి నడిచేస్తుంది అని. దిష్టి పోయిందనో, డాక్టర్ గారి హస్తవాసి అనో సరిపెట్టుకుంటారు చాలామంది. దీని వెనకాల ఉన్న సైన్స్ మాత్రం అద్భుతం, జీవశాస్త్రం మొత్తంలో నాకు అన్నిటికంటే ఇష్టమైన సంగతి ఇదే, అందుకే కొంచెం తీరిగ్గా చెప్తాను.

జబ్బు చేసిన పశువు డల్‌గా ఉండేది ఒంట్లో ఓపిక లేకే అని మనం అనుకుంటాం. 1988లో బెంజమిన్ హార్ట్ అని అమెరికాలో, డేవిస్‌లోని కాలిఫోర్నియా యూనివర్సిటీ పశువైద్యుడు ఒక పేపర్ రాశాడు, అందులో ఆయన చెప్పింది ఏంటంటే, తిండి మానేయడం, నిద్రమత్తుగా పడుండటం, ఒళ్లు నాక్కోకపోవడం, మందకి దూరంగా ఉండటం ఇవన్నీ క్రిమి చేసిన డ్యామేజీ కాదు, క్రిమి మీద యుద్ధం కోసం ఒళ్లు కావాలని చేసే పని అని. ఇంట్లో పెళ్లి పెట్టుకున్నవాళ్లు మిగతా ఖర్చులన్నీ కోసేసి ఉన్న డబ్బంతా ఒకేదానికి మళ్లిస్తారు కదా, ఇక్కడ ఆ పెళ్లి జ్వరం. జ్వరం చాలా ఖరీదైన వ్యవహారం, ఒంటి వేడి 1 డిగ్రీ సెల్సియస్ పెంచాలంటే శరీరం ఖర్చు పెట్టే శక్తి దాదాపు 10 నుంచి 13 శాతం పెరుగుతుంది, ఆ శక్తి ఎక్కడి నుంచి తేవాలి? తిరగడం మానేసి, ఆడటం మానేసి, మేత వెతుక్కోవడం కూడా మానేసి. మేత మానేస్తే ఇంకో లాభం ఉందని హార్ట్ వాదన, చాలా బ్యాక్టీరియాకి పెరగడానికి ఇనుము కావాలి, ఇన్‌ఫెక్షన్ వచ్చినప్పుడు శరీరం రక్తంలో ఉన్న ఇనుముని దాచేస్తుంది, పైగా కొత్త మేత లోపలికి రాకపోతే కొత్త ఇనుమూ రాదు.

జ్వరం నిజంగా మేలు చేస్తుందా అని అడిగేవాళ్లకి 1970లలో మాథ్యూ క్లుగర్ బృందం ఎడారి ఇగువానా బల్లుల మీద చేసిన ప్రయోగాలు చూడమంటాను. బల్లికి మనలా లోపల వేడి పుట్టించుకునే ఏర్పాటు ఉండదు, ఎండలోకి పోతే వేడెక్కుతుంది, నీడలోకి పోతే చల్లబడుతుంది. బ్యాక్టీరియా ఎక్కించిన బల్లులు ఏం చేశాయో తెలుసా, వాటంతట అవే వేడి చోటికి పోయి కూర్చుని ఒంటి వేడిని సుమారు 2 డిగ్రీలు పెంచుకున్నాయి. అంటే జ్వరం తెచ్చుకోవడానికి నడిచి వెళ్లాయన్నమాట! తర్వాత 1975లో వాటిని 34 నుంచి 42 డిగ్రీల దాకా వేరు వేరు వేడిలో ఉంచి చూస్తే, 42 దగ్గర ఉన్నవాటిలో ఎక్కువ భాగం బతికాయి, 34 దగ్గర ఉన్నవాటిలో ఎక్కువ భాగం పోయాయి. మన బళ్లల్లో జ్వరం అంటే థర్మామీటర్‌లో 98.4 దాటడం అని చెప్పేసి పాఠం ముగిస్తారు, ఈ బల్లుల కథ ఒక్కటి చెబితే పిల్లలు జన్మలో మర్చిపోరు.

ఇప్పుడు కొంచెం లోపలికి వెళ్దాం. క్రిమి లోపలికి రాగానే మాక్రోఫేజ్‌లు అనే రక్షక కణాలు ఇంటర్‌ల్యూకిన్-1, ఇంటర్‌ల్యూకిన్-6, టీఎన్‌ఎఫ్-ఆల్ఫా అనే సైటోకైన్లని, అంటే కబురు మోసే రసాయనాల్ని, వదుల్తాయి. ఈ కబురు మెదడుకి రెండు దారుల్లో పోతుంది, ఒకటి పొట్ట నుంచి మెదడుకి పోయే వేగస్ నరం, రెండోది నేరుగా రక్తం, మెదడులో రక్తానికి అడ్డుగోడ పల్చగా ఉండే కొన్ని చోట్ల నుంచి. అక్కడ కాక్స్-2 అనే ఎంజైమ్ ప్రోస్టాగ్లాండిన్ ఇ2 అనే రసాయనాన్ని తయారు చేస్తుంది, అది హైపోథాలమస్‌లో (మెదడులో ఒంటి వేడిని చూసుకునే భాగం) వేడి సెట్టింగ్‌ని పైకి జరుపుతుంది, ఆకలి తగ్గటం, మగత రావటం కూడా ఈ కబురు వల్లే. అంటే ఆ గేదె మేత ముట్టకపోవటం మెదడు తీసుకున్న నిర్ణయం. నిర్ణయం అన్నాక పరిస్థితిని బట్టి మారుతుంది కదా, అసలు సంగతంతా ఇక్కడే ఉంది.

1997లో ఫ్రాన్స్‌లో రాబర్ట్ డాంజర్ (ఈయనా పశువైద్యుడే) వాళ్ల బృందం పాలిచ్చే తల్లి ఎలుకలకి బ్యాక్టీరియా గోడ ముక్కల ఇంజెక్షన్ ఇచ్చారు, జబ్బు లేకుండానే జబ్బు లక్షణాలు వచ్చేస్తాయి దానితో. గది 22 డిగ్రీలు ఉన్నప్పుడు తల్లులు గూడు కట్టడం పక్కన పెట్టేశాయి. అదే 6 డిగ్రీల చలిలో, పిల్లలు చచ్చిపోయే పరిస్థితి కాబట్టి, అదే జబ్బుతో లేచి గూడు కట్టాయి. పిల్లల్ని చెల్లాచెదురు చేస్తే ఒంట్లో బాలేకపోయినా వెనక్కి తెచ్చుకున్నాయి. జీబ్రా ఫించ్ అనే చిన్న పిట్టల్లో 2012లో పాట్రీషియా లోపెస్ బృందం ఇంకో వింత చూపించింది, అదే ఇంజెక్షన్ ఇచ్చిన పిట్ట ఒంటరిగా ఉంటే ముడుచుకుని కూర్చుంటుంది, గుంపులో పెడితే మామూలు పిట్టలాగే తిరుగుతుంది. పెళ్లి ఖర్చుకని దాచిన డబ్బైనా ఇంటికి నిప్పంటుకుంటే ముందు దానికే తీస్తాం కదా, అంతే.

ఇక రైతు గారి గేదె దగ్గరికి వద్దాం. వేటాడి తినే మృగాలకి ఆహారమైన జాతి అది, వేల తరాలుగా మందలో నీరసంగా కనపడ్డదాన్నే పులి ముందు పట్టుకుంది. కొత్త మనిషి, స్పిరిట్ వాసన, సూది, ట్రెవిస్‌లో (పశువు కదలకుండా ఉంచే చట్రం) నిలబెట్టడం, ఇవన్నీ దాని మెదడుకి ఒకే కబురు చెప్తాయి: ప్రమాదం. వెంటనే అడ్రినలిన్, కార్టిసాల్ పెరుగుతాయి, గుండె వేగం పెరుగుతుంది, మెదడు నుంచి వెన్నుపాములోకి దిగే నరాలు నొప్పిని కిందే తొక్కేస్తాయి, శరీరం తనే తయారు చేసుకునే ఎండార్ఫిన్లు కూడా పనిచేస్తాయి. కుక్క కుంటు మాయమయ్యేది ఇందుకే. నొప్పి పోలేదు, కాసేపు అణిగింది, ఇంటికొచ్చాక మళ్లీ కుంటుతుంది.

కొత్త మనిషి ప్రభావం ఎంతుంటుందో మన పాడి రైతులకి ఒకరు చెప్పక్కర్లేదు, రోజూ పితికే మనిషి ఊరెళ్తే గేదె చేపదు. గేదె పొదుగులో పాలు 95 శాతం దాకా లోపలి చిన్న చిన్న గదుల్లోనే ఉంటాయి, ఆవుకి ఉన్నట్టు కిందకి దిగి సిద్ధంగా ఉండేది చాలా తక్కువ, మెదడు నుంచి ఆక్సిటోసిన్ వచ్చి ఆ గదుల్ని పిండితే తప్ప చుక్క పడదు. బెదురుంటే ఆక్సిటోసిన్ సరిగ్గా విడుదల కాదు, అడ్రినలిన్ వల్ల పొదుగుకి రక్తం కూడా తగ్గుతుంది. ఒక్క బెదురు పాలనే ఆపేస్తుందంటే డాక్టర్ గారు తీసే కొలతల్ని మార్చదా? పిల్లుల్లో ఇది మరీ ఎక్కువ, భయంతోనే రక్తంలో షుగర్ అమాంతం పెరిగిపోతుంది, ఆ ఒక్క రిపోర్ట్ చూసి షుగర్ జబ్బు అని తేల్చడానికి లేదు, అందుకే కొన్ని వారాల సగటు చెప్పే ఫ్రక్టోసమీన్ పరీక్ష అడుగుతారు. తాళ్లతో బిగించి, ముక్కు మెలిపెట్టి, నలుగురూ అరుస్తూ పట్టుకుంటే గుండె వేగం, ఊపిరి లెక్క జబ్బుని చూపిస్తున్నాయా భయాన్ని చూపిస్తున్నాయా ఎవరికీ తెలీదు. పశువుని నెమ్మదిగా పట్టుకోవడాన్ని దయ కింద జమకడతారు గానీ నేనైతే దాన్ని రోగ నిర్ధారణలో భాగం అంటాను.

కాబట్టి పశువు నిజంగా ఎలా ఉందో చూసే అవకాశం ఉన్నది ఇంట్లోవాళ్లకే. నెమరు సంగతే తీసుకోండి, ఆరోగ్యంగా ఉన్న పశువు రోజులో 7, 8 గంటలు నెమరు వేస్తుంది, ప్రశాంతంగా ఉంటే తప్ప వేయదు, చాలా జబ్బుల్లో జ్వరం కనపడకముందే నెమరు తగ్గిపోతుంది. పెద్ద డెయిరీ ఫారాల్లో మెడకి సెన్సర్ పట్టీ కట్టి లెక్కపెట్టేది దీన్నే. పట్టీ లేకపోయినా పడుకున్న పశువుని దూరం నుంచి చూస్తే తెలిసిపోతుంది. నిన్న సాయంత్రం నుంచి నెమరు లేదు, కుడితి సగం వదిలేసింది, పేడ గట్టిగా వేసింది, అని చెప్పగలిగితే పశువైద్య హెల్ప్‌లైన్ 1962కి ఫోన్ చేసినప్పుడు కూడా ఆ మాటకి బలం ఉంటుంది. ఇంకా మంచి పని ఏంటంటే సెల్‌ఫోన్‌లో రెండు నిమిషాల వీడియో, దూరం నుంచి, పశువు మిమ్మల్ని పట్టించుకోనప్పుడు తీసింది. కుంటు, దగ్గు, మూర్ఛ ఇవన్నీ క్లినిక్‌కి వచ్చేసరికి దాక్కునేవే. పిల్లులకైతే 2019లో మాంట్రియల్ యూనివర్సిటీ వాళ్లు మొహం చూసి నొప్పి లెక్కకట్టే పద్ధతి తయారు చేశారు, చెవులు, కళ్లు, మూతి బిగువు, మీసాలు, తల ఎత్తు, ఒక్కోదానికి 0 నుంచి 2, మొత్తం 10కి 4 వస్తే నొప్పి మందు ఆలోచించాలి. అది ఇంట్లో కూర్చుని కూడా వేయొచ్చు.

ఇక్కడే ఒక చిక్కు. మెలోక్సికామ్ లాంటి నొప్పి, జ్వరం తగ్గించే ఇంజెక్షన్ పడగానే గేదె లేచి మేత తింటుంది, జబ్బు తగ్గిపోయిందని మిగతా యాంటీబయాటిక్ కోర్సు ఆపేస్తారు. ఆ మందు చేసేది పైన చెప్పిన కాక్స్ ఎంజైమ్‌ని ఆపడం, ప్రోస్టాగ్లాండిన్ తగ్గింది కాబట్టి జ్వరం దిగింది, ఆకలి వచ్చింది, క్రిమి మాత్రం అక్కడే ఉంది. (డైక్లోఫెనాక్ మాత్రం ఎవరిచ్చినా వద్దనండి, చచ్చిన పశువుని తిన్న రాబందులు దానివల్లే కుప్పలుగా పోయాయి, పశువులకి వాడకూడదని 2006లోనే నిషేధించారు.) మేత తినట్లేదని గొట్టంతో బలవంతంగా పోయడం ఇంకో ప్రమాదం, ఊపిరితిత్తుల్లోకి పోతే న్యుమోనియా. వాతలు పెట్టడం గురించి అయితే చెప్పడానికే బాధేస్తుంది, అసలే ఒక మంటతో పోరాడుతున్న ఒంటికి ఇంకో మంట పెట్టడం అది.

ఇప్పటిదాకా చెప్పిందంతా పశువు మెదడు తన కోసం తీసుకునే నిర్ణయాల గురించి. రేబిస్‌లో అలా కాదు, అక్కడ వైరస్ మెదడులోనే కూర్చుంటుంది, ప్రవర్తనని మార్చేది అదే. పిచ్చికుక్క కరిచిన గేదె అన్నిసార్లూ మీదకి రాదు, చాలాసార్లు అరుపు బొంగురుపోతుంది, మింగలేదు, చొంగ కారుస్తూ నిలబడుతుంది. గొంతులో ఏదో అడ్డం పడిందనుకుని నోట్లో చెయ్యి పెట్టి వెతుకుతారు మనవాళ్లు, పల్లెల్లో పశువు నుంచి మనిషికి ఇది అంటుకునే అవకాశం ఉన్న దారుల్లో ఇదొకటి. అరుపు మారి, చొంగ కారుతూ, నీళ్లు మింగలేని పశువు నోట్లో చెయ్యి పెట్టకండి, కట్టేసి దూరంగా ఉండి డాక్టర్‌ని పిలవండి. ఇప్పటికే పెట్టి ఉంటే సబ్బుతో, పారే నీళ్లతో 15 నిమిషాలు కడిగి అదే రోజు ఆస్పత్రికి పోయి టీకా మొదలుపెట్టించుకోండి, గీత కనపడకపోయినా సరే.