‘చదివి అర్థం చేసుకున్నాను’: ఒక సంతకం వెనక కథ

మా పిన్నిది చీపురుపల్లి దగ్గర పల్లెటూరు. గర్భసంచి ఆపరేషన్ కోసం విశాఖపట్నంలో ఒక ఆసుపత్రిలో చేర్చాం. ముందురోజు సాయంత్రం నాలుగు పేజీల ఫారం చేతిలో పెట్టారు. ఒకవైపు ఇంగ్లీషు, రెండోవైపు తెలుగు. చివర అచ్చులో ఇలా ఉంది: ‘పైన పేర్కొనబడిన విషయములన్నియు నేను చదివి అర్థం చేసుకున్నాను.’ పిన్ని ఏడో తరగతి దాకా చదివింది, రోజూ పేపరు చూస్తుంది. కాగితం రెండుసార్లు తిరగేసి, “ఏటి బాబూ ఇది, తెలుగేనా?” అని నన్నడిగింది. సిస్టర్ వచ్చి “అర్థమైంది కదమ్మా?” అంది. పిన్ని “ఆఁ” అంది. సంతకం పెట్టింది. దాని కింద సాక్షిగా నేనూ పెట్టాను.

ఆ “ఆఁ” నన్ను చాలాకాలం వదల్లేదు. ఆసుపత్రి లెక్కలో విషయం చెప్పడం అయిపోయింది. కాగితం ఉంది, సంతకం ఉంది, సాక్షి ఉన్నాడు. పిన్నికి మాత్రం ఏమీ అందలేదు. మరి ఆ సాయంత్రం ఆమెకి ఎవరైనా ఏదైనా చెప్పినట్టేనా? ఒకరు అన్న మాట ఇంకొకరికి ‘చెప్పిన మాట’ ఎప్పుడవుతుంది? ఆసుపత్రి వరండాలో నాకు పుట్టిన ఈ ప్రశ్న చాలా పాతది. దాని తెలుగు చరిత్రలో మన విశాఖకీ చోటుంది.

విశాఖలో ఈ సమస్య ఎందుకింత బరువైనదో తెలియాలంటే కేజీహెచ్, అంటే కింగ్ జార్జ్ ఆసుపత్రి, ఓపీ దగ్గర ఒక పొద్దున్న నిలబడితే చాలు. 1923లో మొదలైన ఆ ఆసుపత్రికి ఇప్పటికీ శ్రీకాకుళం, పార్వతీపురం, పాడేరుల నుంచి, అటు ఒడిశా సరిహద్దు ఊళ్ల నుంచి జనం వస్తారు. ఒక్క క్యూలోనే నాలుగైదు రకాల తెలుగు, ఒడియా, కువి అనే గిరిజన భాష వినిపిస్తాయి. వాళ్లందరూ చివరికి సంతకం పెట్టాల్సిన కాగితాల భాష మాత్రం ఒకటే.

1907 ప్రాంతంలో ఉత్తర కోస్తా జిల్లాలకు స్కూళ్ల ఇన్‌స్పెక్టరుగా జె.ఎ. యేట్స్ అనే ఇంగ్లీషాయన వచ్చాడు. తరగతి గదుల్లో పండితులు నేర్పే తెలుగు ఒకటి, బయట జనం మాట్లాడే తెలుగు ఇంకొకటి. బయటిదాన్ని బడిలో ‘గ్రామ్యం’ అని తోసేస్తున్నారు. ఇదెందుకని ఆయన విశాఖపట్నం మిసెస్ ఏవీఎన్ కాలేజీ ప్రిన్సిపాల్ పి.టి. శ్రీనివాస అయ్యంగారిని అడిగాడు. దీనికి జవాబు చెప్పగలవాళ్లు ఇద్దరున్నారని అయ్యంగారు అన్నారు: విజయనగరంలో గురజాడ అప్పారావు, పర్లాకిమిడిలో గిడుగు రామమూర్తి. తర్వాత వ్యావహారిక భాషోద్యమం అని పేరు పడినదానికి మొదటి అడుగు ఆ సంభాషణే. మా పిన్ని ‘తెలుగేనా?’ అని అడగడానికి నూరేళ్లకు పైగా ముందు ఒక పరాయి దేశస్థుడు దాదాపు అదే ప్రశ్న అడిగాడు.

ఆనాటి బడి తెలుగుకు చట్రం పరవస్తు చిన్నయసూరి బాలవ్యాకరణం. అది 1858 నాటిది. వ్యాకరణంగా దాని బిగువును కాదనలేం. కానీ అది వర్ణించింది కావ్యాల భాషని. పిల్లలు వ్యాసాలు రాయాల్సింది కూడా ఆ భాషలోనే అయ్యేసరికి, పిల్లవాడి ఆలోచన ఒక భాషలో, కాగితం ఇంకో భాషలో ఉండిపోయాయి. ఉద్యమం ఒత్తిడితో 1912-13లో స్కూల్ ఫైనల్‌లో వ్యాసం ఆధునిక భాషలోనూ రాయొచ్చని అనుమతి వచ్చింది. అంతే గొడవ మొదలైంది. అప్పటికే ఏర్పడిన ఆంధ్ర సాహిత్య పరిషత్తు తరఫున జయంతి రామయ్య పంతులు గ్రాంథికం వైపు, అంటే ఆ పాత కావ్య భాష వైపు, గట్టిగా నిలబడ్డారు. మద్రాసు యూనివర్సిటీ కమిటీలో గ్రాంథికం వైపే మొగ్గు. దాన్ని ఒప్పుకోలేనంటూ గురజాడ 1914లో పెద్ద అసమ్మతి పత్రం రాసిచ్చారు. ఆ మరుసటి ఏడే కన్నుమూశారు. వచ్చిన అనుమతి కూడా నిలవలేదు.

రామయ్య పంతులుగారి పక్షాన్ని మనం మూర్ఖత్వమని కొట్టేయడం అన్యాయం. ఎవరి మాట వాళ్లు రాస్తే ఒక జిల్లావాడు రాసింది ఇంకో జిల్లావాడికి ఎలా తెలుస్తుంది అన్నది ఆ పక్షం వాదం. ఇందులో నిజముంది. మా వైపు ‘గుంట’ అంటే ఆడపిల్ల. ‘గుంట పడిపోనాది’ అని శ్రీకాకుళం తల్లి చెబితే, గుంటూరు నుంచి వచ్చిన హౌస్ సర్జన్ గొయ్యి గురించి అనుకోవచ్చు. ‘అప్ప’ మాకు అక్క, రాయలసీమలో కొన్నిచోట్ల నాన్న. గిడుగు దీనికి జవాబు ఇచ్చారు. చదువుకున్నవాళ్లు నిత్యం మాట్లాడుకునే, అన్ని ప్రాంతాలవాళ్లకూ తెలిసే శిష్టవ్యావహారికాన్ని రాతకి పెట్టుకోమన్నారు. చివరికి గెలిచింది అదే. పత్రికలు, కథలు, రేడియో అటు తిరిగాయి. యూనివర్సిటీలు మాత్రం చాలా ఆలస్యంగా కదిలాయి.

‘వ్యవహారం’ అనే ఆ మాట దగ్గర కాసేపు ఆగుతాను. ఇది ఈ ఉద్యమం కోసం పుట్టిన మాట కాదు. మాటకి అర్థం ఎలా తెలుస్తుంది అన్న చర్చలో మన నైయాయికులు, మీమాంసకులు, అంటే న్యాయ, మీమాంస దర్శనాల పండితులు, వందల ఏళ్లుగా వాడిన పారిభాషిక పదం. పద శక్తిని, అంటే ఏ మాటకి ఏ అర్థమో, తెలుసుకునే దారులు ఎనిమిదని ఒక ప్రసిద్ధ శ్లోకం లెక్కపెడుతుంది. వ్యాకరణం, నిఘంటువు, నమ్మదగినవాడి మాట వగైరాలతో పాటు వ్యవహారం కూడా అందులో ఉంది. పిల్లలకి భాష మొదట అందేది ఈ దారిలోనే. ఒక పెద్దాయన ఇంకొకరితో ‘ఆవుని తీసుకురా’ అంటాడు, అతను తెస్తాడు. ‘ఆవుని కట్టెయ్, గుర్రాన్ని తీసుకురా’ అంటాడు, అలాగే జరుగుతుంది. పక్కన ఉన్న పసివాడు ఏ మాట మారితే ఏ పని మారిందో చూసి, ఆవంటే ఏమిటో, తేవడమంటే ఏమిటో పట్టుకుంటాడు. అంటే మాటలు పనుల మధ్య, మనుషుల మధ్య పుడతాయి. నిఘంటువు ఆ తర్వాత వస్తుంది.

అదే సంప్రదాయం ఇంకో మెట్టు కూడా ఎక్కింది. వాక్యం అర్థం కావాలంటే పదాల మధ్య ఆకాంక్ష (ఒక పదం ఇంకో పదాన్ని కోరడం), యోగ్యత (వాటి అర్థాలు పొసగడం), సన్నిధి (పదాలు దగ్గరదగ్గరగా రావడం) కావాలన్నారు. చాలామంది వీటికి తాత్పర్యాన్నీ, అంటే చెప్పేవాడి ఉద్దేశాన్నీ చేర్చారు. ‘సైంధవం తీసుకురా’ అన్నది వాళ్ల ఉదాహరణ. సైంధవమంటే ఉప్పూ అవుతుంది, గుర్రమూ అవుతుంది. భోజనాల దగ్గర అంటే ఉప్పు తేవాలి, ప్రయాణమప్పుడు అంటే గుర్రం తేవాలి. వినేవాడు సందర్భాన్ని చూసి చెప్పేవాడి మనసు పట్టుకోకపోతే వాక్యం సగంలోనే ఆగిపోతుంది. ఫారం మీది వాక్యాలకి ఈ పరీక్ష పెట్టి చూడండి. ‘శస్త్రచికిత్సానంతర సంక్లిష్టతలు సంభవించు అవకాశము కలదు’ అన్నది ఎవరి తాత్పర్యం? ఎదురుగా మనిషి లేడు, సందర్భం లేదు, అడిగితే విప్పి చెప్పే గొంతు లేదు.

పడమటి తత్వవేత్తలు ఈ చోటికి వేరే దారిలో వచ్చారు. మాటలంటే నా మనసులోని భావాలకు గుర్తులు, వాటిని అవతలి మనసులోకి పంపిస్తాను అన్న చిత్రాన్ని 17వ శతాబ్దంలో జాన్ లాక్ గట్టిగా నిలబెట్టాడు. 1948లో క్లాడ్ షానన్ అనే అమెరికన్ ఇంజనీరు సమాచారాన్ని తీగల మీద పంపడానికి గణిత సిద్ధాంతం ఇచ్చాడు. సందేశం అర్థమేమిటన్నది తన ఇంజనీరింగ్ సమస్యకు సంబంధించింది కాదని ఆయన మొదటి పేజీలోనే రాశాడు. తర్వాతివాళ్లు ఆ హెచ్చరికని మర్చిపోయి, మనుషుల మాటనీ గొట్టంలో నీళ్లలా చూడటం అలవాటు చేసుకున్నారు. ఇటు పోస్తే అటు వస్తుంది, పోసేశాం కాబట్టి పని అయిపోయింది. ఆసుపత్రి ఫారం కూడా నాకు ఆ గొట్టంలాగే కనిపిస్తుంది.

విట్‌గెన్‌స్టయిన్ చనిపోయాక 1953లో వచ్చిన ఆయన పుస్తకం ఈ చిత్రాన్ని బాగా కదిలించింది. చాలా సందర్భాల్లో మాటకి అర్థమంటే దాని వాడుకే అన్నాడు. ఆయన ఉదాహరణలో మేస్త్రి ‘పలక’ అని అరుస్తాడు, పనివాడు పలక అందిస్తాడు. ఆవునీ గుర్రాన్నీ తెప్పించిన మన పెద్దాయన గుర్తుకొస్తాడు. ఒకరిది ఇంకొకరు చూశారని నేను అనను. ఇద్దరూ పనిచేసే మనుషుల్ని చూశారు, అంతే.

నాకు ఎక్కువ ఉపయోగపడింది ఇంగ్లీషు తత్వవేత్త జె.ఎల్. ఆస్టిన్. 1955లో హార్వర్డ్‌లో ఇచ్చిన ఉపన్యాసాల్లో ఆయన, కొన్ని మాటలు వర్ణించవు, పని చేస్తాయి అన్నాడు. ఆయన ఉదాహరణల్లో ఒకటి ఓడకి పేరు పెట్టడం. విశాఖవాళ్లకి ఇది చెప్పనక్కర్లేదు. 1948 మార్చి 14న ఇక్కడి సింధియా షిప్‌యార్డ్‌లో నెహ్రూ ‘జల ఉష’ని నీళ్లలోకి దించారు. ఆ రోజు అధికారం ఉన్నవాళ్లు, తగిన చోట, తగిన పద్ధతిలో పలికిన పేరు ఆ ఓడకి పేరైంది. అదే పేరు దారిన పోయేవాడు పలికితే ఉత్త శబ్దం. మాట పని చేయాలంటే షరతులు నెరవేరాలి. హెచ్చరించడం లాంటి పనులకి ఆస్టిన్ పెట్టిన షరతు: అవతలివాడు ఆ మాటని ఆ మాటగా అందుకోవాలి. వినేవాడు పట్టుకోకపోతే హెచ్చరిక జరగనే లేదు, అక్కడ జరిగింది ప్రయత్నం మాత్రమే. ఈ లెక్కన మా పిన్నిని ఆ సాయంత్రం ఎవరూ హెచ్చరించలేదు.

ఇది తత్వవేత్తలు కుర్చీల్లో కూర్చుని అనుకునే విషయం కాదా అని నాతో ఒక లాయర్ మిత్రుడు వాదనకి దిగి, చివరికి తనే నాకు రెండు తీర్పులు చూపించాడు. 1962 నాటి హరికిసన్ కేసు. మహారాష్ట్రలో ఒకాయన్ని నిర్బంధించి, కారణాలు ఇంగ్లీషులో ఇచ్చారు. నాకు ఇంగ్లీషు రాదు, హిందీలో ఇవ్వండి అన్నాడు. అనువదించి నోటితో వినిపించాం, ఇంగ్లీషు ఇంకా అధికార భాషే కదా అని అధికారులు కాదన్నారు. రాజ్యాంగం 22వ అధికరణంలో కారణాలు ‘తెలియజేయాలి’ అంటే, అతనికి అర్థమయ్యే భాషలో మనసుకి చేరేలా ఇవ్వడమే అని సుప్రీంకోర్టు చెప్పి, నిర్బంధాన్ని కొట్టేసింది. రెండోది 2008 జనవరి నాటిది. పరీక్ష కోసం మత్తు ఇచ్చిన రోగికి, ఆమె మత్తులో ఉండగా తల్లి ఒప్పుకుందని గర్భసంచి, అండాశయాలు తీసేశారు. అది చెల్లదని కోర్టు అంది. ఒప్పుకోలు నిజమైనది కావాలంటే చికిత్స ఏమిటో, వేరే దారులున్నాయో లేదో, ప్రమాదాలేమిటో రోగి గ్రహించేలా చెప్పి ఉండాలని చెప్పింది. ఆస్టిన్ పెట్టిన షరతే ఇక్కడ చట్టమై కూర్చుంది.

మరి ఇన్ని గెలుపుల తర్వాత కూడా ఆ ఫారం అలా ఎందుకుంది? 1966లోనే తెలుగుని అధికార భాషగా చట్టం చేశారు. కానీ ఇంగ్లీషు పత్రాన్ని పక్కన పెట్టుకుని పదానికి పదం దించే అలవాటు ఆఫీసుల్లో, ఆసుపత్రుల్లో పెరిగింది. దానితో ‘పేర్కొనబడిన’, ‘నిర్వహించబడును’ లాంటి కొత్త గ్రాంథికం తయారైంది. పాత గ్రాంథికం వెనక కనీసం నన్నయ నుంచి వచ్చిన కావ్యాలున్నాయి. దీని వెనక ఎవరి వాడుకా లేదు. వార్డుల్లో సిస్టర్లు రోజూ అనే ఆపరేషన్, మత్తు, కుట్లు, చీము, రక్తం ఎక్కించడం వంటి మాటలు అందరికీ తెలుసు. ఇవి ఫారంలోకి మాత్రం రావు, మర్యాదగా ఉండవని.

తెలుగే ఇంటిభాష కానివాళ్ల సంగతి ఇంకా కష్టం. 2022లో పాడేరు కేంద్రంగా అల్లూరి సీతారామరాజు జిల్లా విడిపోయింది గానీ, అక్కడివాళ్లు పెద్ద వైద్యానికి ఇప్పటికీ విశాఖ వస్తారు. కువి, గదబ, ఆదివాసీ ఒడియా మాట్లాడే ముసలివాళ్లకి ఆసుపత్రిలో నోరూ చెవీ మనవళ్లే. గిడుగు దీన్ని ముందే చూశారు. తెలుగు కోసం పోట్లాటకి దిగకముందే, తెలుగు వచ్చిన ఒక సవర తెగ మనిషిని ఇంట్లో పెట్టుకుని సవర భాష నేర్చుకున్నారు, సవర పిల్లలకి బడులు పెట్టారు, 1931లో ఆ భాషకి వ్యాకరణం అచ్చయింది. ఆగస్టు 29న ఆయన జయంతిని తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకుంటాం. ఆ సభల్లో సవర గురించి ఒక్క మాట కూడా వినిపించకపోవడం నాకు బాధగా ఉంటుంది.

పరిష్కారం వైద్యులకి తెలియనిది కాదు. చెప్పాక “అర్థమైందా?” అని అడగొద్దు, “ఇంటికెళ్లి మీవాళ్లకి ఏం చెబుతారో నాకోసారి చెప్పండి” అని అడగండి అన్న పద్ధతి వైద్య విద్యలో ఉంది. దానికి పట్టేది ఐదు నిమిషాలు. ఓపీలో వందమంది నిలబడి ఉంటే ఆ ఐదు నిమిషాలు ఎక్కడినుంచి తెస్తారన్నదీ న్యాయమైన ప్రశ్నే. అది డాక్టర్ల సంఖ్యకి, సిస్టర్ల డ్యూటీలకి సంబంధించింది. భాషావేత్తలు తీర్చలేరు.

ఆ రాత్రి డ్యూటీకి రాజాం వైపు సిస్టర్ ఒకావిడ వచ్చింది. పిన్ని ముఖం చూసి మంచం పక్కన కూర్చుని, “అప్పా, రేపు నిన్ను ఏటి సేస్తారో తెలుసునా?” అని మొదలుపెట్టింది. పొట్ట మీద వేలితో గీత గీసి చూపించింది. మత్తు గురించి, కుట్ల గురించి, రక్తం ఎందుకు తెచ్చి పెట్టమన్నారో చెప్పింది. పిన్ని వింటూ వింటూ మధ్యలో ఆపి, రెండు రోజుల్లో మొదటిసారి ఒక ప్రశ్న అడిగింది: “అయితే నాను మల్లీ నీల బిందె ఎత్తడానికి ఎన్నాళ్లు పడతాది?” ఆ నాలుగు పేజీల ఫారం ఇప్పటికీ నా దగ్గరుంది. ఆ ప్రశ్నకి జవాబు అందులో ఎక్కడా లేదు.