కొండ మీద బాక్సైట్, కొండ కింద అనాస

రాయగడ స్టేషన్ బయట కారు మాట్లాడుకోబోతే డ్రైవరు ముందుగా అడిగే మాట, "మజ్జిగౌరమ్మ గుడికేనా అండీ?" విజయనగరం, శ్రీకాకుళం వైపు నుంచి వచ్చేవాళ్ళలో ఎక్కువమంది అమ్మవారి దర్శనం చేసుకుని, నాగావళి మీద వేలాడే వంతెన చూసి, సాయంత్రం రైలుకి వెళ్ళిపోతారు. లక్ష్మీపూర్ మీదుగా దామన్‌జోడి, సెమిలిగుడ, పొట్టంగి తిప్పి చీకటి పడేలోగా సాలూరులో దింపమంటే ఆయనకి వింతగా ఉంటుంది. "అటు చూడ్డానికి ఏముందండీ, కొండలూ తోటలూ తప్ప!" మనకి కావలసినవి ఆ రెండే.

భాషతో ఇబ్బంది లేదు. 1936లో ఒడిశా వేరే ప్రాంతంగా ఏర్పడేదాకా ఇదంతా మద్రాసు ప్రెసిడెన్సీ, జయపురం సంస్థానం. రాయగడ బజారులో ఇప్పటికీ తెలుగులో బేరమాడొచ్చు. బస్సు వద్దు, బండి పెట్టుకోండి అనడానికి కారణం వేరు. ఈ దారిలో చూడాల్సినవాటికి స్టాపులు లేవు. రోడ్డు కోసం కొండను కోసిన చోట, కోతలో రాయి తాజాగా బయటపడ్డ చోట ఆపమని అడగగలగాలి. మలుపులో ఆపమంటే మాత్రం డ్రైవరు వినడు, వినకూడదు కూడా.

ఊరు దాటి కొంతదూరం పోయాక కొండల నెత్తి వైపు చూడండి. కొండంటే పైన మొన తేలి ఉంటుందని మనకి అలవాటు. ఇక్కడ చాలా కొండలకి మొనే లేదు, పైనంతా బల్లపరుపు. కొడింగమాలి, పంచపట్మాలి, బాఫ్లిమాలి, సిజిమాలి, అన్నిటిదీ ఇదే వాలకం. పంచపట్మాలి ఒక్కటే పద్దెనిమిది కిలోమీటర్ల దాకా పొడవు, సముద్రమట్టానికి వెయ్యి మీటర్లకు పైన. దూరం నుంచి చూస్తే ఒక కొండ తలా పక్క కొండ తలా ఇంచుమించు ఒకే ఎత్తులో తేలతాయి. అందుకే ఇవన్నీ ఒకప్పుడు ఒకే మైదానమనీ, వాగులు కోసుకుంటూ పోగా మిగిలిన ముక్కలనీ భూగర్భ శాస్త్రం చెబుతుంది. ఇంకో విచిత్రం, అడవి ఉండాల్సిన పైభాగంలో గడ్డి తప్ప పెద్దగా చెట్లుండవు. చెట్లు వాలు మీద ఉంటాయి, తోటలు ఇంకా కింద.

దీనికి జవాబు రాయిలో ఉంది. కోతల్లో కనిపించే రాయి చారలు చారలుగా, తుప్పు రంగులో, మధ్యమధ్య ముదురెరుపు గింజలతో ఉంటుంది. దీన్ని ఖొండలైట్ అంటారు. ఈ కొండల్లో బతికే కొందు గిరిజనుల పేరు మీద 1902లో టి.ఎల్. వాకర్ పెట్టిన పేరు. ఎర్ర గింజలు గార్నెట్ అనే ఖనిజం. వాటితో పాటు క్వార్ట్జ్, సన్నని పుల్లల్లాంటి సిల్లిమనైట్, అక్కడక్కడ వేలికి నల్లగా అంటుకునే గ్రాఫైట్ ఉంటాయి. సిల్లిమనైట్‌లో అల్యూమినియం చాలా ఎక్కువ. అది ఇంతగా ఉందంటే ఈ రాయి మొదట నీటి అడుగున పేరుకున్న బంకమట్టి అయి ఉండాలి. ఆ మట్టి భూమి లోపలికి ఇరవై, ముప్పై కిలోమీటర్లు దిగిపోయి, 800 డిగ్రీల సెల్సియస్ దాటిన వేడిలో, పైనున్న బరువంతా మోస్తూ ఉడికాక ఇలాంటి గార్నెట్, సిల్లిమనైట్ జంట తయారైంది. ఇది జరిగి సుమారు వంద కోట్ల ఏళ్ళు. అప్పటికి తూర్పు అంటార్కిటికాలో కొంత భాగమూ మన తూర్పు కనుమలూ ఒకే పర్వతశ్రేణి. దాదాపు 13 కోట్ల ఏళ్ళ కిందట రెండూ విడిపోయి మధ్యలోకి సముద్రం వచ్చింది. అక్కడ మంచు కింద ఉన్నదీ, ఇక్కడ టీకొట్టు వెనక పెచ్చులూడుతున్నదీ దగ్గర చుట్టాలే.

రాయి పైకి తేలాక పని వానది. కోరాపుట్ జిల్లాలో ఏడాదికి 1500 మిల్లీమీటర్ల అటూఇటూ కురుస్తుంది. వాననీరు గాలిలోంచీ, మట్టిలోని వేర్లనుంచీ కార్బన్ డయాక్సైడ్ కలుపుకుని కాస్త ఆమ్లంగా మారుతుంది. వాలు మీదైతే జారిపోతుంది. చదును నేల మీద నిలిచి, పగుళ్ళలోంచి నిదానంగా కిందకి దిగుతుంది. దిగుతూ ముందు సోడియం, పొటాషియం, కాల్షియం పట్టుకుపోతుంది. తర్వాత, ఎంతో నెమ్మదిగా, ఇసుకలో ఉండే సిలికాను కూడా. అల్యూమినియం, ఇనుము మాత్రం మొండివి, అంత తేలిగ్గా కరగవు. ఫిల్టర్‌లో వేణ్ణీళ్ళు పోస్తే డికాషన్ కిందకి దిగి పిప్పి పైన ఉండిపోయినట్టు, ఈ కొండల నెత్తిన ఆ రెండూ ఉండిపోయాయి. కోట్ల ఏళ్ళు ఇలా జరిగాక పోగుపడ్డదే బాక్సైట్. పైపొర ఇనుముతో పెంకులా గట్టిపడింది. మొక్కకి కావలసిన పోషకాలు ఏనాడో కొట్టుకుపోయాయి. అంత గట్టి పెంకులో, అంత పేద నేలలో చెట్టు వేరూనడం కష్టం, గడ్డి సర్దుకుంటుంది.

దామన్‌జోడి దగ్గర ఈ పిప్పి ఖరీదు తెలుస్తుంది. 1981లో పెట్టిన ప్రభుత్వరంగ సంస్థ నాల్కో, పంచపట్మాలి పైన తవ్విన బాక్సైట్‌ను పద్నాలుగు కిలోమీటర్లకు పైగా పొడవున్న కన్వేయర్ బెల్టు మీద కిందనున్న శుద్ధి కర్మాగారానికి దింపుతుంది. కాస్టిక్ సోడాలో మరిగించి అల్యూమినాను, అంటే అల్యూమినియం ఆక్సైడ్‌ను, వేరు చేస్తారు. లోహంగా మార్చే స్మెల్టర్ ఇక్కడ లేదు, అంగుల్‌లో ఉంది. రెండు టన్నుల అల్యూమినా నుంచి సుమారు ఒక టన్ను అల్యూమినియం వస్తుంది. అందుకు తినే కరెంటు భారీగా ఉంటుంది కాబట్టే స్మెల్టర్‌ను బొగ్గు గనుల పక్కన పెట్టారు. గనిలోకి అనుమతి లేకుండా పోనివ్వరు. గేటు దగ్గర టైం వేస్ట్ చేసుకోకుండా సెమిలిగుడ వైపు పోతే తోటలు మొదలవుతాయి.

మామిడి, పనస, జీడిమామిడి, అనాస, ఎత్తు పెరిగేకొద్దీ సిల్వర్ ఓక్ నీడలో కాఫీ, ఆ చెట్లకే పాకిన మిరియాల తీగలు. చూసినవాళ్ళు మంచి సారవంతమైన నేల అనుకుంటారు. నిజానికి చాలాచోట్ల ఇది పేద నేల. కొండపై రాయిని కడిగిన వానే వాలు మీది మట్టినీ కడిగింది. సున్నం, పొటాషియం పోయాయి, ఎరుపు మిగిలిన ఇనుముది. ఇలాంటి మట్టి క్రమంగా ఆమ్లమవుతుంది. ఇక్కడే, తేలిగ్గా కరగదని పైన చెప్పుకున్న అల్యూమినియం మాట మారుస్తుంది. మట్టి పి.హెచ్. (ఆమ్లాన్ని చూపే అంకె, ఎంత తగ్గితే అంత ఆమ్లం) 5.5 కన్నా దిగినకొద్దీ, ముఖ్యంగా 5 దాటి కిందకి పోతే, అది కొద్దికొద్దిగా కరిగి వేర్లకి అందుతుంది. చాలా పంటలకి అది విషం. వేరు కొసల్లో కణవిభజన ఆగి, వేరు పొట్టిగా, మొద్దుగా తయారై, లోతుకి పోలేక నీళ్ళకి మొహం వాస్తుంది. పైగా అల్యూమినియం, ఇనుము కలిసి భాస్వరాన్ని పట్టేస్తాయి. రైతు డబ్బు పోసి వేసిన సూపర్ ఫాస్ఫేట్‌లో పెద్ద వాటా మొక్కకి కాక మట్టికే పోతుంది. ఆమ్లపు నేలల్లో సున్నం వేయమని చెప్పేది ఇందుకే.

ఈ పరీక్ష నెగ్గిన మొక్కలే ఈ వాలుల మీద నిలిచాయని నా అభిప్రాయం. అనాసకి 4.5 నుంచి 5.5 దాకా పి.హెచ్. హాయిగా సరిపోతుంది. మిగతా మొక్కలు పగలు చేసే పని అది రాత్రి చేస్తుంది. చల్లబడ్డాక ఆకు రంధ్రాలు తెరిచి కార్బన్ డయాక్సైడ్ తీసుకుని ఆమ్లంగా దాచుకుని, పగలు రంధ్రాలు మూసుకుని ఆ నిల్వతో పిండిపదార్థం చేసుకుంటుంది. నీటి ఖర్చు తక్కువ, వేరు లోతుకి పోకపోయినా నడిచిపోతుంది. జీడి సంగతి మరోలా ఉంటుంది. దానికి లోతైన వేరు, గొప్ప ఓపిక. ఇలాంటి నేలల్ని తట్టుకునే మొక్కల్లో చాలా వాటి వేర్లు సిట్రిక్, మాలిక్ ఆమ్లాల వంటివి బయటికి వదిలి, అల్యూమినియంను బంధించి లోపలికి రానివ్వవు. టీ మొక్క ఇంకో అడుగు ముందుకేసి దాన్ని ఆకుల్లోనే నింపుకుంటుంది.

అనాసా జీడీ రెండూ దక్షిణ అమెరికావి, పోర్చుగీసువాళ్ళతో 16వ శతాబ్దంలో మన దేశానికి వచ్చినవి. బ్రెజిల్‌లోనూ విపరీతంగా వాన కడిగిన ఎర్రమట్టి విస్తారంగా ఉంది, బాక్సైట్ గనులూ ఉన్నాయి. సముద్రాలు దాటి వచ్చినా వాటికి ఇక్కడి మట్టి కొత్తగా అనిపించి ఉండదు.

రాయగడ నుంచి ఇంకో దిక్కుకి, బిస్సంకటక్ వైపు పోతే నియమగిరి. అక్కడ డోంగ్రియా కొందుల తోటలు చూస్తే తోట అన్న మాటకి మన ఊహే మారిపోతుంది. వరసలుండవు. అడవి చెట్ల మధ్యే అనాస, అరటి, పనస, కమలా, పసుపు కలిసి పెరుగుతుంటాయి. నేల ఎప్పుడూ ఏదో ఒక ఆకు కింద ఉండటంతో వాన నేరుగా మట్టిని కొట్టదు, రాలిన ఆకు కుళ్ళి పైపొరలో కాస్త పోషకం నిలుపుతుంది. ఇంత పేద నేల మీద ఇంతకన్నా తెలివైన పద్ధతి నాకు తోచదు. పళ్ళు బుధవారం చాటికోన సంతకి దిగుతాయి. కొనండి, అడిగిన ధర ఇవ్వండి, మనుషుల ఫోటోలు తీయకండి. ఈ కొండ మీదా బాక్సైటే ఉంది. తవ్వాలా వద్దా అన్నది తేల్చడానికి గ్రామసభల మాట వినాలని 2013 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు చెప్పింది. సభలు జరిగిన 12 ఊళ్ళూ వద్దన్నాయి.

ఆ గొడవలో నీళ్ళ మాట పదేపదే వచ్చింది. బాక్సైట్ పొరలో సిలికా పోయిన చోటల్లా సందులు ఉంటాయి, వాన పడితే లోపలికి దిగుతుంది. దాని అడుగున సగం కుళ్ళిన రాయి, తెల్లటి బంకమట్టి పొర. అది నీటిని అంత తేలిగ్గా పోనివ్వదు. కాబట్టి దిగిన నీరు ఆ హద్దు దగ్గర పక్కకి తిరిగి, కొండ పక్క నుంచి ఊటగా బయటపడుతుంది. కొండ చుట్టూ వాగులు ఒక ఎత్తులోనే మొదలవడం ఇక్కడి రైతులు ఎప్పుడో గమనించిన విషయం. నాగావళి, వంశధార, ఇంద్రావతి మూడూ తువాముల్ రాంపూర్ చుట్టుపక్కల ఇలాంటి కొండల్లోనే పుడతాయి. శ్రీకాకుళం జిల్లా వాళ్ళకి ఇది పరాయి రాష్ట్రపు భూగోళం కాదు, తోటపల్లి, గొట్టా బ్యారేజీల్లో నిలిచేవి ఈ నీళ్ళే.

తవ్వితే నేల వదులై వాన ఇంకా బాగా ఇంకుతుందని వాదించేవాళ్ళున్నారు. ఇంకడం ఒక లెక్క, నిలవడం ఇంకో లెక్క. పది, పదిహేను మీటర్ల మందాన నీటిని పట్టి ఉంచే పొర తీసేశాక, ఇంకిన వాన ఎక్కడ ఆగి మే నెల దాకా కొంచెం కొంచెంగా దిగాలి? తవ్విన గోతుల్ని మట్టితో పూడ్చి మొక్కలు నాటడం మంచిదే గానీ, ఆ మట్టి పాత పొరలా నీటిని దాచి వదులుతుందో లేదో చెప్పాలంటే ఊటల దగ్గర ఏళ్ళ తరబడి కొలతలు తీయాలి. తవ్వకానికి ముందూ తర్వాతా అలా కొలిచి, లెక్కలు ఊళ్ళవాళ్ళ ముందు పెట్టాలని కోరడం అత్యాశేం కాదు.

మీరు వెళ్ళేది మే ఆఖరులో అయితే మంచిది. మామిడీ పనసా ఉంటాయి, అనాస మొదలవుతుంది, వానాకాలం ఇంకా మొదలవదు కాబట్టి వాగుల్లో కనిపించే నీరు చాలావరకు కొండ దాచిందే. కమలాలు కావాలంటే శీతాకాలం రావాలి, అప్పుడు పొగమంచుకి పదింటిదాకా కొండలు కనబడవు. పొట్టంగి దగ్గర 1672 మీటర్ల దేవ్‌మాలి ఒడిశాలో అన్నిటికన్నా ఎత్తైనది, పైదాకా పోవాలనుకుంటే కాఫీ తోటల దగ్గర ఎక్కువసేపు ఆగకండి. సుంకి ఘాట్ దిగేది వెలుతురుండగానే అని డ్రైవరుతో ముందే మాట్లాడుకోండి. చాటికోన సంతకి వేరే రోజు పెట్టుకోండి, రెండూ ఒక్క రోజులో అవ్వవు.