ఆ డోర్నకల్ అయ్యగారి కథ

చిన్నీ, బన్నీ,

మొన్న డోర్నకల్‌లో ఆ పెద్ద కట్టడం చూసి "తాతయ్యా, ఇది గుడా, మసీదా, చర్చా?" అని అడిగారు. రైలుకి టైమైపోతోందని హడావిడిలో నేను సరిగ్గా చెప్పలేదు. అది చర్చే. ఎపిఫనీ కథీడ్రల్, అంటే బిషప్పు ఉండే పెద్ద చర్చి. బిషప్పంటే ఒక ప్రాంతంలోని చర్చిలన్నిటికీ పెద్ద. స్తంభాలు మన మండపాల్లోలాగా, గుమ్మటాలు మసీదుకున్నట్టుగా ఉంటాయి. కట్టడానికి దాదాపు పాతికేళ్లు పట్టింది. 1939 జనవరి 6న ప్రతిష్ఠ చేశారు. అలా కట్టించిన పెద్దాయన వేదనాయగం శామ్యూల్ అజరయ్య.

ఆయన మనవాడు కాదు, తమిళుడు. 1874లో తిరునెల్వేలి ప్రాంతంలో వెళ్లాలన్‌విళై అనే పల్లెలో పుట్టాడు. నాన్న ఊరి చర్చిలో అయ్యగారు, అంటే పాస్టరు. మద్రాసు క్రిస్టియన్ కాలేజీలో చదివి, వైఎంసీఏ అనే క్రైస్తవ యువకుల సంఘంలో ఉద్యోగం చేశాడు. 1903లో స్నేహితులతో కలిసి ఒక మిషనరీ సంఘం, అంటే మతప్రచారం చేసే సంఘం, పెట్టాడు. డబ్బూ మనుషులూ అంతా తిరునెల్వేలి క్రైస్తవులదే, దొరలది కాదు. ఆ సంఘం ఎంచుకున్న చోటే నిజాం రాజ్యంలోని డోర్నకల్. ఊరికే సలహాలిస్తూ కూర్చోకుండా 1909లో తనూ చర్చి అయ్యగారిగా అభిషేకం పొంది తనే బయల్దేరాడు. ముప్పై అయిదేళ్ల వయసులో తెలుగు అక్షరాలు దిద్దుకున్నాడు. హిందీ పరీక్ష అంటేనే మీకు టెన్షన్ కదా!

మరుసటేడు స్కాట్లాండ్‌లోని ఎడిన్‌బరోలో ప్రపంచ మిషనరీల మహాసభ. ఎక్కువమంది తెల్లవాళ్లే. అజరయ్య లేచి, తెల్ల మిషనరీలకీ భారతీయ పనివారికీ మధ్య ఉన్న దూరం గురించి మొహం మీదే చెప్పాడు. మీ ఆస్తి బీదలకిచ్చారు, శరీరాల్ని కాల్చడానికి అప్పగించారు, మేం ప్రేమ కూడా అడుగుతున్నాం, "మాకు స్నేహితుల్నివ్వండి" అన్నాడు. ఆ మాటలు బైబిల్లో ప్రేమ గురించిన అధ్యాయంలోవి. అది వాళ్లకి కంఠతా వచ్చు, కాబట్టి దెబ్బ ఎక్కడ తగిలిందో తెలిసే ఉంటుంది. కొందరికి నచ్చలేదు కూడా.

ఆ రోజుల్లో మనదేశంలో ఆంగ్లికన్ బిషప్పులంతా ఇంగ్లీషువాళ్లే. ఆంగ్లికన్ అంటే ఇంగ్లండ్ చర్చి పద్ధతి. అజరయ్యని బిషప్పుని చెయ్యాలని మద్రాసు బిషప్పు హెన్రీ వైట్‌హెడ్ పట్టుబట్టాడు. భారతీయుడు బిషప్పేమిటని దొరలు గొణిగారు. అప్పట్లో తక్కువగా చూసే నాడార్ కులస్థుడు బిషప్పేమిటని మనవాళ్లలోనే కొందరు గొణిగారు. రెండోదే నాకు ఎక్కువ బాధ. అయినా 1912 డిసెంబర్ 29న కలకత్తా సెయింట్ పాల్స్ కథీడ్రల్‌లో ఆయన తొలి భారతీయ ఆంగ్లికన్ బిషప్పు అయ్యాడు.

ఎద్దులబండి మీద, సైకిల్ మీద పల్లెలు తిరిగేవాడు. మాలమాదిగ వాడల్లో కూర్చునేవాడు. చర్చిలోకి వచ్చాక కూడా కులం పాటిస్తే ఊరుకునేవాడు కాదు. బాప్తిస్మం తీసుకున్నవాళ్లతో చెయ్యి నెత్తిమీద పెట్టించి, "నేను బాప్తిస్మం పొందిన క్రైస్తవుణ్ణి, సువార్త ప్రకటించకపోతే నాకు శ్రమ" అనిపించేవాడు. శ్రమ అంటే ఇక్కడ కీడు. చదువు రాని కూలీ కూడా తనే ప్రచారకుడని ఆ మాటకు అర్థం.

అయితే అందరూ మెచ్చుకున్నారనుకోకండి. మతమార్పిడి విషయంలో గాంధీగారికీ ఆయనకీ పడలేదు. చిత్రమేమిటంటే, క్రైస్తవ ప్రతినిధుల్ని క్రైస్తవులే ఎన్నుకునేలా వేరే నియోజకవర్గాలు కావాలన్న వాదాన్ని మాత్రం ఆయనే వ్యతిరేకించాడు. మీరు పెద్దయ్యాక రెండు వైపులా చదవండి.

ఇంకో సంగతి. మన వీధి చివర చర్చి బోర్డు మీద సీఎస్ఐ అని ఉంటుంది, చూశారా? దక్షిణ ఇండియా సంఘం అన్నమాట. ఆంగ్లికన్లూ, మెథడిస్టులూ, మరికొందరూ ఒకే చర్చి అవ్వాలని అజరయ్య ఏళ్ల తరబడి మాట్లాడాడు. 1945 జనవరి 1న డోర్నకల్‌లోనే పోయాడు. ఆ బోర్డు మీది మూడక్షరాలు 1947 సెప్టెంబర్‌లో పుట్టాయి.

మీ తాతయ్య