లాల్చీ ఎప్పటి నుంచి మన సంప్రదాయం?

పోయిన మాఘమాసంలో మా పిన్ని కొడుకు పెళ్ళికి ముందు చుట్టాల వాట్సాప్ గ్రూపులో పెద్ద రగడ జరిగింది. శుభలేఖ కింద "అందరూ సంప్రదాయ దుస్తుల్లో రాగలరు" అని ఒక ముక్క వేయించారు. ఆడవాళ్ళకి గొడవ లేదు, పట్టుచీర అనేశారు. పేచీ అంతా మగవాళ్ళ దగ్గరే. కుర్రాళ్ళు కుర్తా పైజామా అన్నారు. పెదనాన్న ఒప్పుకోలేదు, పైజామా మనది కాదు, పంచె మీద లాల్చీ వేసుకుని రండి అన్నాడు. దానికి మా బావ, "పైజామా మనది కానప్పుడు లాల్చీ మనదెలా అయింది మామయ్యగారూ?" అని పెట్టాడు. ఆయన ఆ తరవాత రెండు రోజులు గ్రూపులో గుడ్ మార్నింగ్ కూడా పెట్టలేదు.

బావ వేళాకోళానికే అన్నా, ప్రశ్న మాత్రం నిజమైనదే. మనం సంప్రదాయం అని పిలిచే ఈ కుట్టిన పైబట్ట అసలు ఎక్కడిది, ఎప్పుడొచ్చింది, ఎప్పుడు మనదైపోయింది?

ముందు పేర్లు చూడండి. కుర్తా, పైజామా రెండూ పారశీకం నుంచి వచ్చిన మాటలు. పాయ్ అంటే కాలు, జామా అంటే బట్ట, అంతే. జుబ్బా అరబ్బీ. కమీజు కూడా అరబ్బీయే, ఆ అరబ్బీ మాటకి వెనక లాటిన్ మాట ఉందంటారు. బెంగాలీ మగవాళ్ళు దుర్గాపూజకి వేసుకునే కుర్తాని వాళ్ళు పంజాబీ అంటారు. మనవాళ్ళు ఆడపిల్లలు వేసుకునే సల్వార్ కమీజుని పంజాబీ డ్రెస్ అన్నారు. ఎవరికి వాళ్ళు ఇది పక్కవాళ్ళ దగ్గర్నుంచి వచ్చిందని పేరులోనే రాసి పెట్టుకుని, మళ్ళీ అదే మా సంప్రదాయం అంటున్నారన్న మాట.

అలాగని కుట్టిన బట్ట మనకి తురుష్కులతోనే వచ్చిందనే మాట కూడా నిలబడదు. నాగార్జునకొండ చూడండి. మూడో శతాబ్దంలో అది ఇక్ష్వాకుల విజయపురి. అక్కడి శిల్పాల్లో రాజులూ రాణులూ నడుము కింద బట్టే తప్ప పైన పెద్దగా ఏమీ లేకుండా నగలతో నిలబడి ఉంటే, ఒక స్తంభం మీద మాత్రం మధ్య ఆసియా నుంచి వచ్చిన శకుల సైనికుడు పొడుగు చేతుల అంగీ, కాళ్ళకి పైజామా లాంటిది, నెత్తిన టోపీతో కనిపిస్తాడు. కృష్ణా తీరం ఎండల్లో ఆ వేషం ఏమిటా అనిపిస్తుంది. ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుడి రాణుల్లో రుద్రధర భట్టారిక ఉజ్జయిని నుంచి వచ్చిన శక రాజకుమార్తె అని గుర్తుపెట్టుకుంటే ఆ సైనికుడు అంత వింతగా ఉండడు. అంగీ తొడుక్కున్న మనుషులు మన ఊళ్ళలో పదిహేడు వందల ఏళ్ళ కిందటే తిరిగారు. కాకపోతే అది అప్పుడు బయటివాళ్ళ బట్ట, కాపలావాళ్ళ బట్ట.

ఉత్తరాదిన అది ఇంకా ముందే వచ్చింది. మధురలో దొరికిన, కుషాణ రాజు కనిష్కుడి తల లేని విగ్రహానికి పొడుగు కోటు, బూట్లు ఉంటాయి. గుప్తుల నాణేల మీద రాజులు అదే కుషాణుల పద్ధతి అంగీలతో కనిపిస్తారు. ఏడో శతాబ్దానికి వచ్చేసరికి సంస్కృత కవి బాణుడు హర్ష చక్రవర్తి వెంట ఉన్న రాజుల వేషాలు వర్ణిస్తూ కంచుకం, వారబాణం, చీనచోలకం, కూర్పాసకం అని రకరకాల కుట్టిన పైబట్టల పేర్లు చెబుతాడు. 1030 ప్రాంతంలో మధ్య ఆసియా పండితుడు అల్ బిరూనీ ఈ దేశపు అలవాట్లు రాసుకుంటూ, ఆడవాళ్ళు వేసుకునే కుర్తకం అనే పొట్టి చొక్కాకి కుడి ఎడమల రెండు పక్కలా చీలికలుంటాయని రాశాడు. పక్క చీలికలు! వెయ్యేళ్ళు గడిచినా దర్జీ దగ్గర ఆ చీలిక ఎంత పైకి ఉండాలన్న దాని మీదే మనం ఇంకా బేరాలాడుతున్నాం.

బాణుడి జాబితాలో ఉన్న కూర్పాసం తెలుగులో కుప్పసం అయింది. మలయాళంలో కుప్పాయం అని చొక్కాకి పేరుగా ఇంకా బతికే ఉంది. మనం దాన్ని వదిలేసి చొక్కా, షర్టు అనుకున్నాం. తెలుగులో కూర్పాసం పేరు చెప్పగానే గుర్తొచ్చేది శ్రీనాథుడే. విజయనగరంలో ప్రౌఢదేవరాయల దర్శనం దొరక్క ఆయన చెప్పినట్టు ప్రచారంలో ఉన్న చాటువు బళ్ళో అందరం విన్నదే. కుల్లాయి, అంటే పొడుగు టోపీ, పెట్టుకున్నాను, కోక చుట్టుకున్నాను, మహాకూర్పాసం తొడుక్కున్నాను, వెల్లుల్లి, నువ్వులపిండి తిన్నాను, అంబలి తాగాను, ఇంత చేసినా తల్లీ కన్నడ రాజ్యలక్ష్మీ, నీకు దయ రాలేదా అని వాపోతాడు. ఇంటర్వ్యూ కోసం ఉక్కపోతలో టై కట్టుకుని మూడు గంటలు రిసెప్షన్‌లో కూర్చున్నవాడి బాధ ఇది. అంటే పదిహేనో శతాబ్దపు తెలుగు కవికి ఆ కుట్టిన చొక్కా ఇంటి బట్ట కాదు, కొలువు బట్ట.

కొలువు బట్ట అనడానికి ఇంకో సాక్షి కూడా ఉన్నాడు. 1443లో పారశీక రాయబారి అబ్దుర్ రజాక్ అదే దేవరాయల సభకి వచ్చి, రాజు పట్టు కబా వేసుకుని ఉన్నాడని రాశాడు. కబా అంటే ముందు తెరిచి ఉండే పొడుగు అంగీ. మనవాళ్ళు దాన్ని కబాయి అన్నారు. ఆ కాలానికి పారశీకం నుంచి ఢిల్లీ, బీదర్ దాకా పెద్ద దర్బారులన్నిట్లో అదే వేషం. పక్కన బహమనీ సుల్తానుతో యుద్ధాలు చేస్తున్నా, వేషం దగ్గరకి వచ్చేసరికి ఇద్దరూ ఒకే దర్జీ దగ్గర కుట్టించుకున్నట్టు ఉండేవారు. నేను పెద్దరాజునే అని చూపించుకోవాలంటే అది తొడగాలి. ఇవాళ దేశాధినేతలంతా సూటు వేసుకుని ఫొటో దిగినట్టే.

ఇది కళ్ళతో చూడాలంటే లేపాక్షి వెళ్ళండి. 1530ల నాటి వీరభద్ర ఆలయం కప్పు మీది బొమ్మల్లో మగవాళ్ళు నిలువెత్తు కుల్లాయిలు, ఒంటిని పట్టుకున్న తెల్లటి పొడుగు అంగీలతో బారులు తీరి ఉంటారు. అక్కణ్ణుంచి తిరుమల వెళ్ళండి. మహాద్వారం దాటగానే కుడి పక్కన మండపంలో శ్రీకృష్ణదేవరాయలు తిరుమలదేవి, చిన్నాదేవిలతో చేతులు జోడించి నిలబడ్డ లోహ విగ్రహాలుంటాయి. నెత్తిన అదే కుల్లాయి. ఒంటి మీద మాత్రం అంగీ లేదు, నడుము పైన ఒట్టి ఒళ్ళు, కింద పంచె. సభకి కబాయి, స్వామి ముందుకి కుట్టు లేని బట్ట. నాకైతే ఈ మొత్తం గొడవకి మూలం ఆ ఒక్క విగ్రహంలో కనిపిస్తుంది. మనకి సంప్రదాయం అనేది ఒకటి కాదు, రెండు. ఒకటి నలుగురిలో మర్యాదది, రెండోది మడిది. మడి లెక్కలో సూది పడ్డ బట్ట పనికిరాదు, అది పట్టుదైనా, ఎవరిదైనా. మర్యాద లెక్కలో ఒంటి మీద చొక్కా లేకుండా గడప దాటకూడదు. లాల్చీ ఈ రెండిటి మధ్య నలుగుతూ వస్తోంది.

మొగలుల కాలం గురించి ఒక్క ముక్క చెప్పి వదిలేస్తాను. అప్పటి జామా అనే పొడుగు అంగీ చంక కింద నాడాలతో కట్టుకునేది. హిందువులు ఎడమ పక్కన, ముస్లింలు కుడి పక్కన ముడి వేసుకునేవారు. అదే గుడ్డ, అదే కుట్టు, అదే దర్జీ. తేడా అంతా ముడి దగ్గరే. ఆ కాలపు చిత్రాల్లో మనిషి ఎవరో తెలుసుకోవడానికి ఇప్పటికీ ఆ ముడే చూస్తారు.

హైదరాబాద్ సంగతి వేరు. నిజాం సంస్థానంలో షేర్వానీ మతం బట్ట కాదు, చదువుకున్నవాళ్ళ బట్ట. ఉద్యోగులు, వకీళ్ళు, జాగీర్దార్లు, హిందువైనా ముస్లిమైనా కచేరీకి షేర్వానీతోనే వెళ్ళేవారు. నిజానికి అదీ పాతకాలపుది కాదు, పందొమ్మిదో శతాబ్దంలో అచ్కన్ అనే పొడుగు అంగీకి ఇంగ్లీషు వాళ్ళ పొడుగు కోటుని అంటు కడితే పుట్టింది. ఆంధ్ర పెళ్ళిళ్ళలో రిసెప్షన్‌కి వరుడు షేర్వానీ వేసుకుంటే ఇదేదో ఉత్తరాది పిచ్చి, సినిమాల ప్రభావం అని విసుక్కుంటారు గానీ, తెలంగాణలో చాలా ఇళ్ళలో ముత్తాత ఫొటో చూస్తే మెడ దాకా గుండీలు పెట్టుకున్న షేర్వానీలోనే ఉంటాడు.

కోస్తాలో కథ ఇలా లేదు. పొలం పోయే రైతుకి గోచీ, తలపాగా, చలికాలమైతే పైన ఒక దుప్పటి. లాల్చీ కాస్త ఉన్నవాళ్ళ బట్ట. మా తాతయ్య ఎవరి దర్జా అయినా చెప్పాలంటే "గ్లాస్కో పంచె, సిల్కు లాల్చీ, బంగారు గుండీలు" అనేవాడు. ఆ గ్లాస్కో ఏమిటో నాకు చాలా కాలం తెలీలేదు, ఏదో పాత కంపెనీ అనుకున్నాను. అది స్కాట్లాండులోని గ్లాస్గో. సన్నటి మల్లు బట్ట అక్కడి పేరుతో మన ఊళ్ళకొచ్చి, మన పెద్దరికానికి గుర్తయి కూర్చుంది. పెదనాన్నకి ఇది చెబుదామనుకుని మానుకున్నాను.

గ్లాస్కో మీద తిరుగుబాటుగానే ఖద్దరు వచ్చింది. 1921లో విదేశీ బట్టల్ని వీధుల్లో కుప్పపోసి తగలబెట్టారు. అదే ఏడు సెప్టెంబరులో గాంధీ మదురైలో చొక్కా, టోపీ వదిలేసి కొల్లాయికి, అంటే మోకాళ్ళ దాకా ఉండే పంచెకి, మారాడు. ఆయన చొక్కా తీసేస్తే ఆయన వెంట నడిచినవాళ్ళు ఖద్దరు లాల్చీ తొడిగారు, అదో వింత. శ్రీకాకుళం జిల్లా పొందూరులో వాలుగ చేప దవడతో దూది ఏకి, చేత్తో వడికి నేసే సన్న ఖద్దరు ఆ రోజుల్లోనే పేరు పొందింది. ఇంతవరకూ డబ్బుని చూపించిన లాల్చీ ఇక్కడ అడ్డం తిరిగి త్యాగాన్ని చూపించడం మొదలుపెట్టింది. తరవాత అదే రాజకీయ నాయకుడి యూనిఫాం అయింది. దాని మీద జోకులు నేను కొత్తగా వేయక్కర్లేదు.

ఖద్దరు లాల్చీకి భుజాన సంచీ తగిలిస్తే కవి. లాల్చీ కింద జీన్స్ వేస్తే యూనివర్సిటీ కుర్రాడు. ఈ రెండోదానికి కాస్త కారణం ఒక అమెరికన్. జాన్ బిస్సెల్ అనే ఆయన 1960లో ఫ్యాబ్ఇండియా పెట్టింది మన చేనేతని విదేశాలకి అమ్మడానికి. ఢిల్లీలో మొదటి దుకాణం తెరిచింది 1976లో. అక్కణ్ణుంచి చేనేత కుర్తా నగరాల్లో చదువుకున్నవాళ్ళ ఆదివారం బట్ట అయింది.

ఆడవాళ్ళ దగ్గర ఈ మార్పు మన కళ్ళ ముందే జరిగింది కాబట్టి ఇంకా బాగా తెలుస్తుంది. మా పెద్దక్క ఇంటర్‌లో ఉండగా, ఎనభైల చివర్లో, మొదటిసారి పంజాబీ డ్రెస్ కుట్టించుకుంది. లంగా ఓణీ మానేసి ఇదేం వేషమని మామ్మ వారం రోజులు సణిగింది. కాళ్ళు విడివిడిగా కనిపిస్తున్నాయన్నది ఆవిడ బాధ. ఒళ్ళు లంగా ఓణీ కంటే ఎక్కువే కప్పుతోంది కదా అంటే వినలేదు. ముప్పై ఏళ్ళు తిరిగేసరికి అక్క కూతురి కాలేజీ వాళ్ళు నోటీసు పెట్టారు: జీన్స్, టాప్స్ వద్దు, చున్నీతో చుడీదార్ మాత్రమే. మామ్మ బతికి ఉంటే ఏమనేదో. ఒక తరానికి తెగింపు అనిపించిన బట్ట మరో తరానికి పద్ధతి అయింది, అదీ జీన్స్ వచ్చి పక్కన నిలబడ్డాక. పనిలో పనిగా మంగళగిరి నేతగాళ్ళు చీరతో పాటు డ్రెస్ మెటీరియల్ నేయడం మొదలుపెట్టారు, నిజాం అంచుతో సహా. ఆ అంచు పేరు కూడా గమనించండి.

ఇప్పుడు దుస్తుల నియమాల దగ్గరకి వద్దాం. తిరుమలలో కల్యాణోత్సవం లాంటి సేవలకి మగవాళ్ళు పంచెతో గానీ, కుర్తా పైజామాతో గానీ రావచ్చు. ఆడవాళ్ళకి చున్నీతో చుడీదార్ చెల్లుతుంది. తిరువనంతపురం పద్మనాభస్వామి గుళ్ళో మగవాళ్ళు చొక్కా తీసెయ్యాలి, లాల్చీ అయినా సరే. ఆడవాళ్ళు చుడీదార్‌తో వస్తే పైన ముండు, అంటే మలయాళీల పంచె, చుట్టుకోవాలి. 2016 చివర్లో అక్కడి అధికారి చుడీదార్ చాలన్నారు, కొద్ది రోజులకే కేరళ హైకోర్టు ఇలాంటివి తేల్చాల్సింది తంత్రి, అంటే గుడి ప్రధాన పూజారి, అని ఆ ఉత్తర్వు కొట్టేసింది. ఇక క్లబ్బుల్లో లెక్క పూర్తిగా తిరగబడుతుంది. 2014లో చెన్నైలో పంచె కట్టుకుని వచ్చిన హైకోర్టు జడ్జినే ఒక క్లబ్బులో లోపలికి రానివ్వలేదు, దాని మీద గోల జరిగి అదే ఏడు తమిళనాడు అసెంబ్లీ అలాంటి ఆంక్షలు చెల్లవని చట్టం చేసింది. కుర్తా పైజామాని గుమ్మంలోనే ఆపే క్లబ్బులు ఇంకా ఉన్నాయి. దేవుడి దగ్గర ఒకచోట చెల్లి, ఇంకోచోట చెల్లక, దొరల క్లబ్బులో మరీ దేశవాళీ అయిపోయే ఈ గుడ్డకి ఫలానా అని ఒక్క అర్థం చెప్పడం ఎవరి వల్లా కాదు.

పెళ్ళి సంగతి చెప్పలేదు కదూ. పెదనాన్న గంజి పెట్టిన పంచె, తెల్ల లాల్చీతో వచ్చాడు. బావ కావాలనే కుర్తా పైజామా వేసుకొచ్చాడు, దాని మీద కండువా కూడా. ముహూర్తం దగ్గర పడ్డాక మధుపర్కాలు కట్టుకోవడానికి మా తమ్ముడు లోపలికి వెళ్ళి, ఎర్రంచు పంచె కట్టుకుని పైన ఆ వేలకి వేలు పోసి కొన్న బంగారు రంగు లాల్చీ అలాగే ఉంచుకుని పీటల మీద కూర్చున్నాడు. పంతులుగారు అక్షింతల పళ్ళెం పక్కన పెట్టి, "నాయనా, ఆ లాల్చీ తీసేసి ఉత్తరీయం కప్పుకో, కుట్టుబట్ట పనికిరాదు" అన్నారు. వీడియో ఆయన లైట్లు సర్దుకుంటున్నాడు, జిమ్ముకెళ్ళని మా తమ్ముడు పిన్ని మొహం వంక చూశాడు, పిన్ని పెదనాన్న వంక చూసింది. పెదనాన్న తన లాల్చీ గుండీ ఒకటి సవరించుకుని, ఫొటోలయ్యాక తీస్తాడులెండి అన్నాడు.