జిల్లా పేజీ దాటని కరువు

అనంతపురంలో పొద్దున ఆరున్నరకు ఏ టీ అంగడి ముందు నిలబడినా ఇదే కనిపిస్తుంది. పేపరు కట్ట విప్పీ విప్పగానే మధ్యలోంచి జిల్లా టాబ్లాయిడ్‌ను, అంటే ఆ జిల్లా వార్తలకే వేసే చిన్న సైజు పేజీలను, లాగేస్తారు. మెయిన్ పేపరు బల్ల మీదే పడి ఉంటుంది, కాసేపటికి దాని మీద గ్లాసుల మరకలు తేలతాయి. టాబ్లాయిడ్ మాత్రం విడి షీట్లయి నలుగురి చేతుల్లో తిరుగుతుంటుంది. ఎవరి బోరు ఎండింది, ఏ చెరువుకు గండి పడింది, విత్తన వేరుశనగ కోసం నిలబడిన వరసలో ఎవరు సొమ్మసిల్లారు, అన్నీ అందులోనే. ఆ కాగితాలు గుంతకల్లు దాటి కర్నూలు జిల్లాకు పోవు, తాడిపత్రి దాటి కడప జిల్లాకూ పోవు. రాష్ట్రాన్ని ఏలేవాళ్ళు కూర్చునే ఊళ్ళో వాటి మొహం చూసేవాడుండడు.

మా కరువు కబురు మాకే అచ్చేసి మాకే అమ్ముతున్నారన్న మాట. ఎదుగుతున్న ప్రజాస్వామ్యాల్లో మీడియా పాత్ర గురించి సభ పెడితే చర్చంతా ఏ పత్రిక ఏ పార్టీది అన్నదాని చుట్టే తిరుగుతుంది. అదీ తేల్చుకోవాల్సిందే. కానీ రాసిన వార్త ఎంత దూరం పోతోంది, ఎవరి చెవిన పడుతోంది అన్నది ఎవరూ అడగరు. సీమలో ఈ ప్రశ్నకు దాదాపు నూట యాభై ఏళ్ళ చరిత్ర ఉంది.

ధాత నామ సంవత్సరంలో వచ్చింది కాబట్టి 1876-78 నాటి కరువును ఇక్కడి పెద్దలు ధాత కరువు అనేవాళ్ళు. 1871 లెక్కల్లో 9 లక్షల పైచిలుకు ఉన్న కర్నూలు జిల్లా జనాభా 1881 నాటికి 7 లక్షలకు కూడా తూగలేదు. కరువు పనుల్లో మగ కూలీకి రోజుకు ఒక పౌను (అరకిలో లోపు) గింజలు, పైన కొంచెం చిల్లర చాలునని వైస్రాయి పంపిన కరువు ప్రతినిధి సర్ రిచర్డ్ టెంపుల్ తేల్చాడు. ఆ పౌనుతో మనిషి బతకడని మద్రాసు శానిటరీ కమిషనర్ కార్నిష్ వాదించాడు. ఈ వాదన జనానికి తెలిసిందంటే మద్రాసు ఇంగ్లీషు పత్రికల పుణ్యమే. మద్రాసు టైమ్స్ సంపాదకుడు విలియం డిగ్బీ ఇంగ్లండులో చందాలు వసూలయ్యేలా చేశాడు, ఆ కరువు కథనంతా పోగేసి రాసిపెట్టాడు. చచ్చింది కర్నూలు, బళ్ళారి, కడప రైతులు. చదివింది లండన్ దొరలు. ఆ చదువరులకు వైస్రాయిని దించే ఓటు లేదు, ఈ రైతులకు అసలు ఓటే లేదు. పైపెచ్చు 1878 మార్చిలో, కరువు ఇంకా పూర్తిగా చల్లారకముందే, దేశభాషల పత్రికల నోరు నొక్కే చట్టం తెచ్చాడు ఆ వైస్రాయి లార్డ్ లిట్టన్.

ఆ తర్వాత సీమలో రాసేవాళ్ళు పుట్టారు. అచ్చుయంత్రం మాత్రం ఎక్కువగా వేరే ఊళ్ళోనే ఉండేది. కర్నూలులో పుట్టిన గాడిచర్ల హరిసర్వోత్తమరావు 1908లో బెజవాడ నుంచి ‘స్వరాజ్య’ పత్రిక నడిపారు. తిరునెల్వేలి కాల్పుల మీద తెల్లదొరతనాన్ని క్రూరమైన పులితో పోల్చి రాసినందుకు రాజద్రోహం కేసు పెట్టి 3 ఏళ్ళ కఠిన శిక్ష వేశారు. తరిమెలలో పుట్టిన విద్వాన్ విశ్వం కూడా ఆంధ్రప్రభ వారపత్రిక సంపాదకుడయ్యేసరికి ఊరికి దూరమయ్యారు.

ఉన్న ఊళ్ళోనే ఉండి పత్రిక నడిపిన మనిషి పప్పూరు రామాచార్యులు. 1926లో అనంతపురంలో ‘శ్రీ సాధన పత్రిక’ అనే వారపత్రిక మొదలుపెట్టారు. జాతీయోద్యమం, స్థానిక చరిత్ర, ఊళ్ళ కష్టసుఖాలు, ఇక్కడి కుర్రవాళ్ళ పద్యాలు, అన్నీ కలిపి అచ్చువేసేవారు. జైలుకు వెళ్ళారు, తర్వాత శాసనసభకూ వెళ్ళారు. కోస్తాలో పెద్ద పత్రికల చరిత్ర రాసినప్పుడు సాధనకు ఒక వాక్యం దొరికితే గొప్ప. కానీ నా లెక్కలో సీమకు సంబంధించినంత వరకు పత్రిక అనగానే ముందు గుర్తు రావాల్సింది అదే. మా ఊరి మాటను మా ఊళ్ళోనే అచ్చువేసి బయటి జిల్లాలకూ పంపింది కదా!

1937 నవంబరు 16న జరిగిన శ్రీబాగ్ ఒప్పందంలోనూ పత్రికల జాడ ఉంది. మద్రాసు నుంచి ఆంధ్ర రాష్ట్రం విడిపోతే కృష్ణా తుంగభద్రల నీళ్ళలో సీమకు ముందు వాటా ఇస్తామని, రాజధానో హైకోర్టో కోరుకోమని కోస్తా నాయకులు మాట ఇచ్చిన ఒప్పందం అది. అది కుదిరిన ‘శ్రీబాగ్’ మద్రాసులో కాశీనాథుని నాగేశ్వరరావు ఇల్లు. ఆయన ఆంధ్రపత్రిక యజమాని. ఆంధ్ర ఉద్యమానికి గొంతునిచ్చిన పత్రిక ఇంట్లోనే సీమ తన షరతులు రాయించుకుంది. 1953లో కర్నూలు రాజధాని అయింది, మూడేళ్ళకే హైదరాబాదుకు తరలిపోయింది. నీళ్ళ మాట మీద ఇప్పటికీ ఈ జిల్లాల్లో మీటింగులు జరుగుతున్నాయి.

స్వాతంత్ర్యం వచ్చాక ఒక మార్పు మాత్రం కళ్ళకు కట్టినట్టు కనిపిస్తుంది. 1952 కరువుకు సీమలో గంజి కేంద్రాలు తెరిచారు, సైన్యం వచ్చి బావులు లోతు చేసింది, ప్రధాని నెహ్రూ స్వయంగా వచ్చి చూశారు. మొదటి సాధారణ ఎన్నికలు ముగిసిన ఏడాది అది. ఎన్నికలూ స్వేచ్ఛగల పత్రికలూ ఉన్న దేశంలో జనం గుట్టలుగా చచ్చే కరువు రాదని అమర్త్య సేన్ తర్వాతెప్పుడో సిద్ధాంతం చేశారు. ధాత కరువును, 1952ను పక్కపక్కన పెట్టి చూస్తే ఆ సిద్ధాంతం మా గడ్డ మీదే అర్థమవుతుంది. సేన్ రెండో సగం కూడా చెప్పారు, దాన్ని ఎవరూ పెద్దగా ఎత్తరు: ఒక్కసారిగా విరుచుకుపడే ఆకలి వార్త అవుతుంది గానీ, ఏళ్ళ తరబడి కాల్చుకుతినే అర్ధాకలి వార్త కాదు. అనంతపురానిది ఈ రెండో రకం.

1950, 60ల్లో పండితుల నమ్మకం వేరేగా ఉండేది. రేడియోలు, పత్రికలు పెంచితే వెనకబడిన దేశం దానంతటదే ముందుకొస్తుందనుకున్నారు. వంద మందికి 10 పత్రికలు, 5 రేడియోలు, 2 సినిమా సీట్లు ఉండాలని యునెస్కో లెక్క కట్టింది. (మా టూరింగ్ టాకీసుల నేల టికెట్టును ఏ పద్దులో వేశారో!) 1963లో కడపలో ఆకాశవాణి కేంద్రం వచ్చింది. సాయంత్రం పంచాయతీ ఆఫీసు ముందు రేడియో చుట్టూ చేరి వ్యవసాయ సలహాలు విన్న తరం ఇంకా ఉంది. చెప్పేది సర్కారు, వినేది రైతు. రైతు మాట సర్కారు వినడానికి ఆ పెట్టెలో ఏర్పాటు లేదు.

ఈ ఏకపక్షానికి పరాకాష్ఠ 1975. జూన్ 25న ఎమర్జెన్సీ, పత్రికలకు సెన్సారు. ఐదు వారాలు దాటగానే, ఆగస్టు 1న, ఆంధ్రప్రదేశ్‌తో కలిపి ఆరు రాష్ట్రాల్లో దాదాపు 2,400 ఊళ్ళకు ఉపగ్రహం ద్వారా టీవీ పాఠాలు మొదలయ్యాయి. ఒక పక్క అడిగే నోరు మూసి, ఇంకో పక్క వినిపించే పెట్టె తెరిచారు. ఎమర్జెన్సీకి తీర్పుగా 1977 ఎన్నికల్లో ఉత్తరాది కాంగ్రెస్‌ను ఊడ్చేస్తే మన రాష్ట్రంలో 42లో 41 స్థానాలు ఆ పార్టీవే. మిగిలిన ఒక్కటి నంద్యాల. జనతా పార్టీ తరఫున గెలిచింది మా జిల్లా ఇల్లూరు మనిషి నీలం సంజీవరెడ్డి.

అసలు మలుపు 1980ల్లో. 1974లో విశాఖలో మొదలైన ఈనాడు 1982లో తిరుపతి ఎడిషన్ తెచ్చింది. అదే ఏడాది పుట్టిన తెలుగుదేశం తొమ్మిది నెలలకే అధికారంలోకి వచ్చింది, ఈనాడు దాని వెన్నంటి నిలిచింది. 1989లో ఈనాడు జిల్లా టాబ్లాయిడ్లు తెచ్చాక పోటీ పత్రికలకూ తప్పలేదు. అప్పటిదాకా మండలంలో ఏం జరిగినా పేపర్లో రెండు లైన్లు. ఇప్పుడు రోజుకు పదీ పన్నెండు పేజీలు నింపాలి. నింపేదెవరు?

మా మేనమామ కళ్యాణదుర్గంలో ఒక దినపత్రికకు కంట్రిబ్యూటర్, అంటే వార్తలు పంపే స్థానిక విలేకరి. 1990ల మొదట్లో నేను బడి వదిలాక ఆయన వెంటే తిరిగేవాణ్ణి. తెల్ల కాగితాల మీద పొడుగ్గా రాసి, పైన ఊరి పేరు, తేదీ వేసి, పొడుగు కవర్లో పెట్టి, ‘ప్రెస్ న్యూస్ - అర్జెంట్’ అని ఎర్ర సిరాతో రాసేవాడు. ఫొటో ఉంటే రీలు డబ్బా కూడా అందులోనే. సాయంత్రం అనంతపురం బస్సు కండక్టరుకు ఆ కవరు ఇవ్వడం నా పని. “అన్నా, ప్రెస్సు కవర్” అంటే చాలు, ఆయన టికెట్ల పెట్టె పక్కన దోపుకునేవాడు. అక్కడ బస్టాండులో ఆఫీసు కుర్రాడు కాచుకుని ఉండేవాడు. బస్సు పంక్చరైతే ఆ రోజుకు మా మండలంలో ఏమీ జరగనట్టే. నెలాఖరున మామ అచ్చయిన ముక్కలన్నీ కత్తిరించి, కాగితాలకు అంటించి, స్కేలు పెట్టి కొలిచి పంపేవాడు. కొలతను బట్టి డబ్బు. ఎక్కువ నెలలు అది టీ ఖర్చులకు సరిపోయేది కాదు, కొన్ని నెలలు వచ్చేదే కాదు. అయినా తాసీల్దారు ఆఫీసులో కుర్చీ వేసేవాళ్ళు. ఆ కుర్చీయే ఆయన జీతం.

ఆ పేజీల బలం తక్కువేమీ కాదు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్ళు సారా అంగడి మూయించిన కబురు ఊరూరా పాకిందంటే జిల్లా పేజీల చలవ చాలా ఉంది. ఈనాడు ఆ ఉద్యమానికి రోజూ చోటిచ్చింది. సీమ జిల్లాల్లోనూ ఆడవాళ్ళు సారా వేలంపాటలను అడ్డుకున్నారు. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారా నిషేధం అమలైంది. ఇక్కడ గమనించాల్సింది, ఆ వార్త జిల్లా పేజీలో ఆగలేదు. మెయిన్‌కు ఎక్కింది, పక్క జిల్లాకు దాటింది. అందుకే ప్రభుత్వం కదిలింది.

మిగతా రోజుల్లో అలా జరగలేదు. ‘ఫలానా ఊళ్ళో బోరు చెడింది’ అని పడుతుంది, మర్నాడు కలెక్టరు ఫోను చేస్తాడు, మెకానిక్ వస్తాడు, మూడో రోజు ‘స్పందన’ అని ఇంకో ఐటమ్. ఊరు సంతోషిస్తుంది. భూగర్భ జలం ఎందుకు అడుగంటిందో, ఏటా వేరుశనగే ఎందుకు వేయాల్సి వస్తోందో, ఆ ప్రశ్నలు కలెక్టరు చేతిలో ఉండవు. అవి రాజధానిలో తేలాల్సినవి. ఆ పేజీ రాజధానికి పోదు. ఫ్యాక్షన్ హత్య జరిగితే మాత్రం అదే రాత్రి మెయిన్ మొదటి పేజీ. బయటి జిల్లాల వాళ్ళకు సీమంటే బాంబులు, సుమోలు తప్ప ఎండిన బోర్లు తెలియకపోవడంలో సినిమాల పాపం ఎంతుందో, పేజీలు విడగొట్టిన ఈ పద్ధతి పాపమూ అంతే ఉందని నా అభిప్రాయం.

పత్రికలు చేయాల్సిన పనిని ఒకసారి గ్రామసభలే చేసి చూపించాయి. 2006 ఫిబ్రవరి 2న మా జిల్లా నార్పల మండలం బండ్లపల్లిలో ప్రధాని మన్మోహన్ సింగ్ ఉపాధి హామీ పథకం ప్రారంభించారు. ఆ ఏడాదే జిల్లాలో సామాజిక తనిఖీలు మొదలయ్యాయి. మస్టర్ రోల్ (కూలీల హాజరు పట్టీ) తెచ్చి చెట్టు కింద బిగ్గరగా చదివారు. ఫలానా ఆమె పద్నాలుగు రోజులు పని చేసిందని చదివితే, ఆమే లేచి “నేను ఆ నెల బెంగళూరులో ఉంటి గదప్పా!” అంటే ఇంకేం సాక్ష్యం కావాలి. పత్రికా స్వేచ్ఛ అనే పెద్ద మాటకు ఇంతకంటే చిన్న, గట్టి ఉదాహరణ నాకు దొరకలేదు.

2008 మార్చిలో వైఎస్ కుటుంబం పత్రిక సాక్షి రావడంతో ఏ పత్రిక ఏ పార్టీది అన్న గొడవ కొత్త రూపం ఎత్తింది. ‘ఆ రెండు పత్రికలు’ అని వైఎస్ రాజశేఖరరెడ్డి ఈనాడు, ఆంధ్రజ్యోతిలను ఎత్తిపొడవడం అప్పటికే జనం నోళ్ళలో నానుతున్న మాట. పాఠకుడు కూడా రెండు పేపర్లు కొని, రెండిట్లోని అబద్ధాలు తీసేసి మిగిలింది నమ్మడం నేర్చుకున్నాడు. 2009 ఎన్నికల్లో ‘పెయిడ్ న్యూస్’, అంటే డబ్బు తీసుకుని ప్రచారాన్ని వార్తలా వేయడం, బట్టబయలైంది. దాని మీద ప్రెస్ కౌన్సిల్ వేసిన ఉపసంఘంలో తెలుగు సంపాదకుడు కె.శ్రీనివాసరెడ్డి ఒకరు. కింద కంట్రిబ్యూటర్‌కు జీతం లేకపోగా ఆగస్టు 15కు, ఉగాదికి ఇన్ని శుభాకాంక్షల యాడ్లు తేవాలని టార్గెట్ పెడితే, అతను ఎవరి దగ్గరికి పోతాడు? రేపు ఎవరి మీద రాయాలో వాళ్ళ దగ్గరికే.

ప్రభుత్వాలు తమ వంతు చేశాయి. తప్పుడు వార్తలు రాస్తే అధికారులే కేసులు వేయొచ్చని 2007లో జీవో 938, 2019 అక్టోబరులో జీవో 2430. ఒకటి తండ్రి వైఎస్ హయాంలో, ఒకటి కొడుకు జగన్ హయాంలో. ఇద్దరూ పులివెందుల వాళ్ళే. మొదటిదాని మీద నిరసనలు రేగి వెనక్కి తగ్గారు. 2024 ఫిబ్రవరిలో రాప్తాడులో రాజకీయ సభకు వెళ్ళిన ఒక పత్రికా ఫొటోగ్రాఫర్‌ను కొట్టారు. రెండు రోజులకు కర్నూలులో ఒక పత్రిక ఆఫీసు మీద పడ్డారు. రెండుచోట్లా దాడిని ఎదుర్కొంది కిందివాళ్ళే, యజమానులు కాదు.

2016 మే 31న వేలమంది రైతులు సీమ నీళ్ళ కోసం అడుగుతున్న సిద్ధేశ్వరం అలుగుకు తామే శంకుస్థాపన చేసుకోవడానికి కర్నూలు జిల్లాలో కృష్ణ ఒడ్డుకు నడిచినప్పుడు జనం సెల్‌ఫోన్లు పైకెత్తి వీడియోలు తీశారు. పేపర్లో ఎక్కడ పడుతుందో వాళ్ళకు తెలుసు.

2022 ఏప్రిల్‌లో జిల్లాలు చీలాయి. అనంతపురం నుంచి శ్రీసత్యసాయి విడిపోయింది. పేజీలూ ఆ గీతల వెంటే చీలాయి. రాప్తాడు దగ్గర మా చిన్నాయన కొడుకు పట్టుపురుగులు పెంచుతాడు. హిందూపురం మార్కెట్లో పట్టుగూళ్ళ ధర అతనికి రోజూ కావాలి. హిందూపురం ఇప్పుడు వేరే జిల్లా, ఆ ధర వేరే పేజీలో. అందుకని పొద్దున్నే బత్తలపల్లిలో ఉన్న బావమరిదికి ఫోను చేస్తాడు: “బావా, మీ పేపర్లో గూళ్ళ రేటు పడిందేమో చూసి వాట్సాప్‌లో ఫొటో పెట్టు.”