బతికున్నట్టు కాగితం: నవంబర్ లైన్ల వెనక కథ

నవంబర్ వచ్చిందంటే మా కంచరపాలెంలో పెద్దవాళ్ల పలకరింపు మారిపోతుంది. "బాగున్నారా" అన్నాక వచ్చే రెండో మాట "లైఫ్ సర్టిఫికెట్ ఇచ్చేశారా?" పెన్షన్ ఆగకుండా ఉండాలంటే, మనిషి బతికే ఉన్నట్టు ఏటా ఇవ్వాల్సిన కాగితం అది. రైల్వే, పోర్టు, షిప్‌యార్డు, డాక్‌యార్డు, స్టీల్‌ప్లాంటు... విశాఖలో ఏ వీధిలో చూసినా పెన్షన్ మీద నడిచే ఇళ్లు నాలుగు తగులుతాయి. అందుకని ఈ నెలంతా బ్యాంకులు తెరవకముందే గుమ్మాల దగ్గర చేతికర్రలు, మందుల సంచులు, ప్లాస్టిక్ కవర్లో చుట్టిన పాస్‌బుక్కులు కనిపిస్తాయి.

రెండేళ్ల కిందట అమ్మని అలాగే ఒక బ్యాంకుకి తీసుకెళ్లాను. నాన్న రైల్వేలో, వాల్తేరు డివిజన్‌లో పనిచేసి రిటైరయ్యారు, ఆయన పోయాక అమ్మకి ఫ్యామిలీ పెన్షన్ వస్తోంది. గంటన్నర కూర్చున్నాక మా వంతు వచ్చింది. కౌంటర్లో అబ్బాయి తల ఎత్తకుండానే నన్ను అడిగాడు, "ఈవిడ బతికున్నట్టు సర్టిఫికెట్టేనా సార్?" అమ్మ నా పక్కనే, కౌంటర్ అంచు పట్టుకుని నిలబడి ఉంది. వేలిముద్ర మిషన్ ఆమె వేలు తీసుకోలేదు. బొటనవేలు పెట్టింది, చూపుడువేలు పెట్టింది, కొంగుతో తుడిచి పెట్టింది, ఆ అబ్బాయి చెప్తే జుట్టుకి రాసుకుని కాస్త జిడ్డు అంటించి మళ్లీ పెట్టింది. యాభై ఏళ్లు చింతపండు పిసికి, అంట్లు తోమి, బట్టలు ఉతికిన వేళ్లు. గీతలు అరిగిపోయాయి. మర్నాడు రమ్మన్నారు.

ఆటోలో ఏమీ మాట్లాడలేదు. రాత్రి అన్నాల దగ్గర మాత్రం అంది: "అలా అడక్కూడదు కదరా మనిషిని." ముందు వేలిముద్ర గురించి అనుకున్నాను. అమ్మ బాధ ఆ మాట గురించి.

ఆ అబ్బాయిని తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు, రోజుకి ఎన్ని వందలమందిని చూస్తాడో. కానీ అమ్మ అన్నది నిజం, తెలుగులో అలా అడగరు. ఎందుకు అడగరు, మరి ఆ మాట కౌంటర్ దాకా ఎలా వచ్చింది అని వెతుక్కుంటూ పోతే ఇదంతా బయటపడింది.

మనిషి ప్రాణాలతో ఉన్నారా లేదా అని తెలుసుకోవడానికి మనం వాడే మాట "ఉన్నారా". అంతే. "మీ తాతగారు ఉన్నారా?" "ఉన్నారండీ, తొంభై దాటాయి." "మీ నాన్నగారు?" "లేరండీ." చావు అన్న మాట రాకుండా, బతుకు అన్న మాట కూడా రాకుండా, మొత్తం విషయం తెలిసిపోతుంది. కుర్చీ ఇక్కడ ఉంది, ఆకలిగా ఉంది, అని రోజంతా వాడే క్రియే ఇదీ. ఎదుటి మనిషి ఉండటాన్ని ప్రశ్నించకుండా అడిగే పద్ధతి ఇది. పెళ్లికార్డుల్లో చూడండి, పోయినవాళ్ల పేరు ముందు కీ.శే. అని వేస్తారు, పిల్లల పేరు ముందు చి. అని, చి.ల.సౌ. అని. ఉన్న పెద్దవాళ్ల పేరు ముందు ఉన్నారని చెప్పే గుర్తేమీ ఉండదు. శ్రీ చాలు. ఉండటానికి రుజువు అక్కర్లేదన్నది మన భాషలో ముందే ఒప్పుకున్న సంగతి. ఒకటో తారీకున సామాజిక పెన్షన్ ఇవ్వడానికి ఇంటికొచ్చే సచివాలయం పిల్లలు కూడా గుమ్మంలో నిలబడి "మామ్మా, ఉన్నావా?" అనే పిలుస్తారు. ఆ నాలుగు వేల రూపాయలకీ ఆధార్, వేలిముద్ర అన్నీ ఉంటాయి, కానీ ముందు ఆ పిలుపు ఉంటుంది, లోపల్నుంచి "ఉన్నానమ్మా, రా" అని జవాబు వస్తుంది.

మరి "బతుకు" సంగతి వేరు. అది చాలా బరువున్న మాట. పాత రాతలో రకారంతో బ్రతుకు, మాటలో బతుకు. కన్నడంలో బదుకు, తమిళంలో వాళ్, అన్నీ ఒకే వేరు నుంచి వచ్చినవే. దీనికి ప్రాణంతో ఉండటం అన్న అర్థం ఒక్కటే ఉంటే బాధ లేదు. "బతికి చెడ్డ కుటుంబం" అంటాం, అక్కడ బతకడం అంటే దర్జాగా, నలుగురికీ పెట్టి బతకడం. "బతకనేర్చినవాడు" అంటే లౌక్యం తెలిసినవాడు. "బతకలేక బడిపంతులు" అన్న పాత సామెతలో అది సంపాదన. "బతుకు జీవుడా అని బయటపడ్డాను" అంటే గండం గడవడం. "బతికించావురా నాయనా" అని మనం రోజుకి ఒకసారైనా అంటాం, గ్యాస్ బండ సమయానికి వచ్చినా సరే. "ఛీ, ఇదీ ఒక బతుకేనా" అంటే ఆ బతుకులో మర్యాద లేదని. "బతికుంటే బలుసాకు తినొచ్చు" అన్నదాంట్లో ఆ ఆకు మన సింహాచలం కొండ వైపు కూడా ముళ్లపొదల్లో దొరికేదే, కరువులో కోసుకుని వండుకునే ఆకు. మిగతావన్నీ పోయినా ప్రాణం మిగిలితే చాలు అనుకునే చివరి మెట్టు మీద ఉన్న మాట అది.

శ్రీకాకుళం, విజయనగరం ఊళ్ల నుంచి ఇక్కడికొచ్చినవాళ్లని "బతకడానికొచ్చారు" అంటారు. నా చిన్నప్పుడు అది నాకు వింతగా ఉండేది, అక్కడ మాత్రం బతికే ఉన్నారు కదా అని. మా నాన్నే అలా వచ్చినవాడు.

ఇన్ని అర్థాలున్న మాట కాబట్టి, పెద్దావిడ పక్కన నిలబడి ఉండగా "ఈవిడ బతికున్నట్టు" అన్నప్పుడు ఆవిడ చెవికి ఒక్క సంగతి వినపడదు. ఇంకా బతికే ఉందా, ఇంకా ఎన్నాళ్లు, ఎవరి మీద ఆధారపడి, ఇవన్నీ వినపడతాయి.

ఈ మాటలో ప్రాణమూ పొట్టకూడూ విడదీయరానంతగా కలిసిపోయి ఉన్నాయి. ఆ రెండూ ఒకటేనని ఒప్పుకోవడానికి మన న్యాయస్థానాలకి చాలా కాలం పట్టింది. రాజ్యాంగంలో 21వ అధికరణం ప్రాణానికీ వ్యక్తిగత స్వేచ్ఛకీ రక్షణ ఇస్తుంది. అందులో జీవనోపాధి మాట లేదు. 1981లో బొంబాయిలో పేవ్‌మెంట్ల మీద గుడిసెలు వేసుకున్నవాళ్లని ఖాళీ చేయించబోతే కేసు సుప్రీంకోర్టుకి వెళ్లింది, ఓల్గా టెల్లిస్ కేసు అంటారు. 1985 జులైలో ప్రధాన న్యాయమూర్తి వై.వి.చంద్రచూడ్ ధర్మాసనం, బతికే ఆధారం తీసేస్తే బతుకు తీసేసినట్టే, కాబట్టి జీవించే హక్కులో జీవనోపాధి కూడా ఉంది అని తేల్చింది. (వానాకాలం వెళ్లాక ఖాళీ చేయించుకోవచ్చని కూడా అదే తీర్పు చెప్పింది, అది మరిచిపోకూడదు.) ఇంగ్లీషులో పేజీలకి పేజీలు వాదించి కలిపిన ఆ రెండూ తెలుగులో ఒకే మాట. 2023 నవంబర్ 19 రాత్రి మన ఫిషింగ్ హార్బర్‌లో మంటలు లేచి దాదాపు నలభై బోట్లు కాలిపోయినప్పుడు ప్రాణనష్టం లేదని వార్తల్లో చెప్పారు, అది నిజమే. కానీ ఆ బోటు మీద పనిచేసే కళాసీకి, దాని చేప కొనుక్కుని గంపలో పెట్టుకుని వీధుల్లో అమ్మే ఆవిడకి, పోయింది ఏమిటి అంటే బతుకే. ఇంకో మాట లేదు.

మిగతా మాటలు చకచకా చెప్పేస్తాను. "ఉసురు" మన పాత మాట, తమిళంలో ఉయిర్, కన్నడంలో ఉసిరు దానికి తోబుట్టువులు. ప్రాణం, ఊపిరి అని దాని అర్థం, కానీ ఇప్పుడు "ఉసురు తగులుతుంది", "ఉసూరుమంటూ కూర్చున్నాడు" లాంటి చోట్లే మిగిలింది. దాని చోటు "ప్రాణం" తీసుకుంది, అదీ విచిత్రంగా బహువచనంలో: ఒక్క మనిషికే "ప్రాణాలు పోయాయి" అంటాం, పంచప్రాణాల లెక్క అది. "సజీవ" అన్న సంస్కృతం మాట పేపర్లో ఎక్కువగా కనపడేది సజీవ దహనం, సజీవ సమాధి దగ్గరే, అందుకే "సజీవ ధ్రువీకరణ పత్రం" అని ఫారం మీద చదివితే నాకు గుండె జారుతుంది.

ఇక కాగితం చరిత్ర. మన దేశంలో పెన్షన్ల చట్టం 1871 నాటిది. ఆ కాలం నుంచీ పెన్షన్ ఖజానాలో, మనిషి స్వయంగా వచ్చి కనపడితేనే ఇచ్చేవాళ్లు. గుమస్తా మనిషిని చూసి, కాగితంలో రాసిన గుర్తులతో పోల్చుకుని, డబ్బు లెక్కపెట్టేవాడు. అయితే రాలేనివాళ్లు ఉంటారు కదా: మంచాన పడ్డవాళ్లు, నడవలేనివాళ్లు, పరదా దాటి బయటికి రాని ఆడవాళ్లు. వాళ్ల కోసం, ఫలానావారు ఉన్నారని ఒక బాధ్యత గల అధికారి సంతకం చేసి ఇస్తే చాలు, రానక్కర్లేదు అని నియమం పెట్టారు. అదీ లైఫ్ సర్టిఫికెట్. రాలేని మనిషిని శ్రమ పెట్టకూడదని పుట్టిన కాగితం. ఇది తెలిసినప్పుడు నేను కాసేపు కదల్లేకపోయాను, ఎందుకంటే మొన్నమొన్నటి దాకా మన వీధుల్లో మంచాన పడ్డవాళ్లని ఆటోలో పడుకోబెట్టి తీసుకెళ్లింది ఆ కాగితం ఇవ్వడానికే.

పెన్షన్ బ్యాంకులకి మారాక ఈ కాగితం ఏటా తప్పనిసరి అయింది, కేంద్ర ప్రభుత్వ పెన్షనర్లకైతే నవంబర్‌లో. గెజిటెడ్ ఆఫీసరు సంతకం కోసం తెలిసినవాళ్ల ఇళ్ల చుట్టూ తిరిగిన రోజులు నాన్న చెప్పేవారు. మధ్యలో 1982 డిసెంబర్ 17న నకారా కేసులో సుప్రీంకోర్టు, పెన్షన్ దయతో పడేసేది కాదు, చేసిన సేవకి వచ్చిన హక్కు అని చెప్పింది. ఆ రోజునే పెన్షనర్ల దినంగా జరుపుకుంటారు. హక్కు అని తీర్పు వచ్చింది గానీ కౌంటర్ దగ్గర భాష మారలేదు.

2014 నవంబర్ 10న ఆధార్‌తో వేలిముద్ర వేసి ఇచ్చే డిజిటల్ పద్ధతి వచ్చింది, పేరు జీవన్ ప్రమాణ్. హిందీలో ప్రమాణ్ అంటే రుజువు, సరిపోయింది. తెలుగులో జీవన ప్రమాణం అంటే పూర్తిగా వేరు, "ప్రజల జీవన ప్రమాణాలు పెరిగాయి" అని మంత్రులు ప్రసంగాల్లో చెప్పేది. ఒట్టి ప్రమాణం అంటే ఒట్టు. మా వీధిలో ఒక పెద్దాయన చాన్నాళ్లు ఇది ఆదాయం ఎంతో చెప్పే ఫారం అనుకుని టెన్షన్ పడ్డాడు, ఎక్కువ రాస్తే పెన్షన్ తగ్గిస్తారేమోనని. పేరు పెట్టినవాళ్లు ఒక్క తెలుగు పెద్దమనిషిని అడిగి ఉంటే ఆ భయం ఉండేది కాదు.

2020 నుంచి పోస్ట్‌మ్యాన్ ఇంటికే వచ్చి వేలిముద్ర తీసుకునే ఏర్పాటు ఉంది, 70 రూపాయలు. 2021 నవంబర్‌లో ముఖం చూసి గుర్తుపట్టే యాప్ వచ్చింది, వేళ్లు అరిగిన మా అమ్మలాంటివాళ్లకి అది నిజంగా పెద్ద మేలు.

కాగితం ఇవ్వకపోతే ఏమవుతుంది? పెన్షన్ ఆగిపోతుంది, ఇచ్చాక మళ్లీ బకాయితో సహా వస్తుంది. అది చిన్న కష్టం కాదు గానీ తీరే కష్టం. తీరని కష్టాలు ఉన్నాయి. ఉత్తరప్రదేశ్‌లో ఆజంగఢ్ జిల్లా లాల్ బిహారీని బంధువులు భూమి కోసం రికార్డుల్లో చనిపోయినట్టు రాయిస్తే, మళ్లీ బతికున్నట్టు రాయించుకోవడానికి 1994 దాకా, దాదాపు పందొమ్మిదేళ్లు పోరాడాడు. దానికి ఎదురు కోణం మన తీరంలో ఉంది. వేటకెళ్లి తిరిగి రానివాణ్ణి పేపర్లు "గల్లంతు" అంటాయి. ఉన్నాడనీ కాదు, లేడనీ కాదు. 1872 నాటి సాక్ష్య చట్టం ప్రకారం ఏడేళ్లపాటు ఆచూకీ తెలియకపోతే, అతను బతికున్నాడని వాదించేవాళ్లే నిరూపించుకోవాలి. 2024లో కొత్త చట్టం వచ్చినా ఆ ఏడేళ్ల లెక్క అలాగే ఉంది. ఆ ఏడేళ్లూ ఆ ఇంటావిడ బొట్టు తీయడానికీ లేదు, వితంతు పెన్షన్‌కి పెట్టుకోవడానికీ లేదు. "మీ ఆయన ఉన్నారా" అని అడిగితే ఆవిడ ఏం చెప్పాలి?

నేను అడిగేది చిన్న విషయమే. ఫారం మీద ఏ పేరైనా ఉండనీ, కౌంటర్ దగ్గర మాత్రం "పెన్షన్ కాగితం కోసమా అమ్మా" అని, పక్కనున్న కొడుకుని కాకుండా ఆవిడనే అడగండి. దానికి జీవో అక్కర్లేదు.

ఈసారి ఇంట్లోనే చేశాం. ట్యూబ్‌లైటు కింద కుర్చీ వేసి అమ్మని కూర్చోబెట్టాను, ఎదురింటి అమ్మాయి ఫోన్ పట్టుకుంది. ఫోటో చూసి మోసం చేయకుండా ఆ యాప్ మనిషిని కళ్లు ఆర్పమంటుంది. అమ్మకి రెండు కళ్లకీ శుక్లాల ఆపరేషన్ అయింది, వెలుతురికి కళ్లు చిట్లిస్తుంది, రెండుసార్లు తప్పింది. "రెప్ప వెయ్యి మామ్మా, నెమ్మదిగా" అంది ఆ పిల్ల. వేసింది. ఆకుపచ్చ గీత వచ్చింది, కాసేపటికి మెసేజ్ వచ్చింది. అమ్మ వెంటనే విజయనగరంలో మా పెద్దమ్మకి ఫోన్ చేసింది: "అక్కా, నాదైపోయింది. నీకు ఎనభై దాటాయి కదా, నీకు అక్టోబర్ నుంచే తీసుకుంటారట, ఇంకా ఊరుకున్నావేటి? రేపు పోస్ట్‌మ్యాన్‌ని పిలిపించు."